ఉక్కు నగరం పొరుగున కొల్హాన్ గొంతు – బాగున్ సుంబ్రుయి

జంషెడ్‌పూర్ పేరు వినగానే ఎవరికైనా ముందుగా స్ఫురించేది ఉక్కు కర్మాగారం. 1907లో ఏర్పడిన టాటా ఉక్కు సంస్థ సువర్ణరేఖ, ఖర్కాయీ నదుల సంగమ ప్రాంతంలో, సాక్చి గ్రామం వద్ద ఈ కర్మాగారాన్ని నిర్మించింది. 1912లో అక్కడ తొలి ఉక్కు వెలువడింది. 1919లో వైస్రాయి చెమ్స్‌ఫర్డ్ ఆ పట్టణానికి జంషెడ్‌జీ టాటా పేరు పెట్టాడు. దేశం నలుమూలల నుండి కార్మికులు అక్కడికి తరలివెళ్ళారు. వారిలో ఉత్తరాంధ్ర నుండి వెళ్ళిన తెలుగువారూ ఉన్నారు. బిష్టుపూర్‌లో వారు నిర్మించుకున్న రామమందిరం నేటికీ ఆ వలసకు గుర్తుగా నిలిచి ఉంది.

పట్టణ చరిత్ర ఇంత ప్రసిద్ధం కాగా, దానికి ఇనుప ఖనిజాన్ని అందించిన పల్లెల చరిత్ర మాత్రం మరుగున పడింది. జంషెడ్‌పూర్‌కు పశ్చిమాన, చాయిబాసా కేంద్రంగా విస్తరించిన కొండకోనల సీమకు కొల్హాన్ అని పేరు. అక్కడి ప్రధాన నివాసులు హో ఆదివాసులు. ఈ సీమ నుండి చట్టసభలకు తొమ్మిది పర్యాయాలు ఎన్నికైన గ్రామీణ నాయకుడు బాగున్ సుంబ్రుయి.

ఆయన రాజకీయ జీవితాన్ని అర్థం చేసుకొనడానికి ముందు హో గ్రామ వ్యవస్థను పరిశీలించవలసి ఉంటుంది. ప్రతి గ్రామానికి ‘ముండా’ అనే పెద్ద ఉంటాడు. కొన్ని గ్రామాలు కలిసి ‘పీఢ్’ అవుతాయి. దానికి పెద్ద ‘మాన్‌కీ’. అడవిని నరికి, పొలం చేసి, ఊరు కట్టిన మూలపురుషుల వంశానికే ఆ నేలపై హక్కు అన్నది సంప్రదాయం. పూర్వీకుల అస్థికలపై నిలిపిన రాతిపలకలే ఆ హక్కుకు సాక్ష్యం. ఆంధ్రదేశపు మన్యంలోని ముఠాదారీ పద్ధతి తెలిసినవారికి ఈ ఏర్పాటు పూర్తిగా కొత్తది కాదు.

ఈస్టిండియా కంపెనీ ఈ సీమను ఆయుధబలంతో లొంగదీసుకొన్నది. అయినా పరిపాలనలో ఆ ప్రాచీన వ్యవస్థను తొలగించలేకపోయింది. 1837లో కెప్టెన్ విల్కిన్సన్ రూపొందించిన నియమావళి మాన్‌కీ, ముండాల అధికారాన్ని గుర్తించింది. అదే సంవత్సరం కంపెనీని ఎదిరించి పోరాడిన పోటో హోను 1838 జనవరి 1న ఉరితీశారు. ఒక చేత గుర్తింపు, మరొక చేత శిక్ష – కొల్హాన్ ప్రజలకు ప్రభుత్వంతో తొలి పరిచయం ఆ విధంగా జరిగింది. అనంతర కాలంలో 1908 నాటి ఛోటానాగ్‌పూర్ కౌలుదారీ చట్టం ఆదివాసుల భూమి అన్యాక్రాంతం కాకుండా కొంత రక్షణ కల్పించింది. 1925 నుండి నోవాముండీ గనిలో తవ్విన ఖనిజం జంషెడ్‌పూర్ కొలుములకు చేరసాగింది.

బాగున్ సుంబ్రుయి 1924లో చాయిబాసా ప్రాంతంలోని ఒక గ్రామంలో, హో కుటుంబంలో జన్మించాడు. ఆయన యౌవనం నాటికి ప్రత్యేక జార్ఖండ్ భావన రూపుదిద్దుకొంటున్నది. 1938లో ఆదివాసీ మహాసభ ఏర్పడింది. మరుసటి సంవత్సరం దానికి నాయకత్వం వహించిన జైపాల్ సింగ్ ముండా తరువాత జార్ఖండ్ పార్టీని స్థాపించాడు. 1952 ఎన్నికలలో ఆ పార్టీ బీహార్ శాసనసభలో ప్రధాన ప్రతిపక్షంగా నిలిచింది. అయినా 1955లో రాష్ట్రాల పునర్విభజన సంఘం జార్ఖండ్ కోరికను అంగీకరించలేదు. 1963లో జైపాల్ సింగ్ తన పార్టీని కాంగ్రెసులో విలీనం చేయడంతో, ఆ పార్టీని నమ్ముకున్న గ్రామాలలో తీవ్రమైన అసంతృప్తి నెలకొన్నది.

సుంబ్రుయి ప్రాధాన్యం పొందింది ఈ సంధికాలంలోనే. విలీనాన్ని అంగీకరించని వారిని కూడగట్టి ఆయన అఖిల భారత జార్ఖండ్ పార్టీకి నాయకుడయ్యాడు. 1967, 1969, 1972 ఎన్నికలలో చాయిబాసా నుండి శాసనసభకు ఎన్నికయ్యాడు. 1977లో సింగ్‌భూమ్ నియోజకవర్గం ఆయనను లోక్‌సభకు పంపింది. 1980, 1984, 1989లలోనూ అక్కడి ప్రజలు ఆయననే ఎన్నుకొన్నారు.

నడుముకు ధోవతి, పైన అనాచ్ఛాదితమైన దేహం – పల్లెలోనైనా, పార్లమెంటులోనైనా ఆయన వేషం అదే. ఢిల్లీ పత్రికలకు అది వింతగా తోచింది. కొల్హాన్ రైతుకు అందులో వింత ఏమీ లేదు. తన తండ్రి, తాత పొలంలో ఉన్న తీరే అది. ఎన్నికైన తరువాత కూడా తమవాడు తమవాడుగానే మిగిలినాడన్న విశ్వాసం ఆయన దీర్ఘ ప్రాతినిధ్యానికి బలమైన ఆధారమయింది.

అయితే ప్రాతినిధ్యం, పరిష్కారం ఒకటి కావు. ఆయన లోక్‌సభలో ఉన్న కాలంలోనే సింగ్‌భూమ్ అడవులలో పెద్ద ఆందోళన చెలరేగింది. సాల వృక్షాన్ని ఆదివాసులు పవిత్రంగా భావిస్తారు. దాని పూలతో పండుగ చేసుకొంటారు. ఆకుతో విస్తళ్ళు కుట్టుకొంటారు. గింజను సేకరించి అమ్ముకొంటారు. అటువంటి చెట్ల స్థానంలో టేకు నాటాలని ప్రభుత్వ అటవీ సంస్థ 1970ల చివర సంకల్పించినప్పుడు గ్రామాలు తిరగబడ్డాయి. 1980 సెప్టెంబరు 8న గువా గని పట్టణంలో ఆందోళనకారులపై పోలీసులు కాల్పులు జరిపారు. చికిత్స కోసం ఆసుపత్రికి చేరిన క్షతగాత్రులు కూడా తూటాలకు బలికావడం ఆ సంఘటనలోని దారుణం. ఓటు వేసి ఢిల్లీకి పంపిన ప్రతినిధి ఒకరు ఉన్నప్పటికీ, అడవి మీద నిర్ణయం మాత్రం ఆ గ్రామాల చేతికి రాలేదు.

కాంగ్రెసులో విలీనాన్ని వ్యతిరేకించి ఎదిగిన నాయకుడే 1984 నాటికి కాంగ్రెసు అభ్యర్థిగా గెలిచాడు. విమర్శకులకు ఇది అవకాశవాదంగా కనిపించింది. పాట్నాలోను, ఢిల్లీలోను అధికారం లేని చిన్న పార్టీ ప్రతినిధిగా ఎంతకాలం కేకలు వేసినా ఊరికి రోడ్డు రాదన్న అనుభవం దాని వెనుక ఉన్నదని మరొక వాదం. రెండింటిలోనూ కొంత సత్యం ఉన్నది. ఆ ఖాళీని జార్ఖండ్ ముక్తి మోర్చా భర్తీ చేసింది. 1991లో సింగ్‌భూమ్ స్థానం ఆ పార్టీకి చెందిన కృష్ణ మరాండీకి దక్కింది.

2000 సంవత్సరం ఆరంభంలో సుంబ్రుయి మళ్ళీ చాయిబాసా నుండి కాంగ్రెసు పక్షాన బీహార్ శాసనసభకు ఎన్నికయ్యాడు. ఆ సంవత్సరం నవంబరు 15న జార్ఖండ్ రాష్ట్రం అవతరించింది. బీహార్ సభ్యుడిగా గెలిచిన ఆయన అదే ఎన్నికతో జార్ఖండ్ తొలి శాసనసభలో సభ్యుడై, ఉపసభాపతిగానూ పనిచేశాడు. 2004లో, ఎనభై ఏళ్ళ వయసులో, ఐదవసారి లోక్‌సభలో ప్రవేశించాడు. 2009లో ఆ స్థానం స్వతంత్ర అభ్యర్థి మధు కోడాకు దక్కింది.

2018 జూన్ 22న, తొంభై నాలుగేళ్ళ వయసులో సుంబ్రుయి జంషెడ్‌పూర్‌లోని టాటా ఆసుపత్రిలో కన్నుమూశాడు. ఏ నగరానికి తన సీమ ఖనిజాన్ని పంపిందో, ఆ నగరంలోనే ఆయన తుదిశ్వాస విడిచాడు.

ఆయన ఎన్నిసార్లు గెలిచాడన్న లెక్క సులభమైనది. రాష్ట్రం కావాలన్న కోరిక ఆయన జీవితకాలంలోనే నెరవేరింది. గ్రామసభ మాటకు అడవి విషయంలో, గని విషయంలో ఎంత విలువ దక్కింది అన్నది అంత సులభంగా తేలే లెక్క కాదు. 1996లో షెడ్యూల్డు ప్రాంతాలకు పంచాయతీ చట్టాన్ని విస్తరించినప్పుడు పార్లమెంటు అంగీకరించినది ఆ విలువనే. ఆ చట్టం కొల్హాన్ పల్లెలలో ఎంతవరకు ఆచరణకు వచ్చిందన్నదే సుంబ్రుయి వంటి ప్రతినిధుల సుదీర్ఘ కృషికి సరైన కొలమానం.