ఊరు వదిలిన కొలువు: ఆండీస్ పర్వతాల్లో యానాల చరిత్ర

పదిహేనో శతాబ్దం మధ్య నుంచి 1532 వరకు, ఇప్పటి కొలంబియా దక్షిణపు కొస మొదలుకొని చిలీ నడిమి భాగం దాకా ఆండీస్ పర్వతాల వెంబడి విస్తరించిన ఇంకా సామ్రాజ్యంలో నాణెం చలామణీలో లేదు. రాజుకు చెందవలసిన పన్నంతా మనిషి కష్టం రూపంలోనే చేరేది. ఆ కష్టాన్ని లెక్కగట్టడానికి రాజ్యం ఆధారపడినది ఐల్యు అనే వ్యవస్థ మీద. తాము ఒకే పూర్వీకుడి సంతతి అని భావించుకుంటూ, పొలాన్నీ పచ్చికనూ ఉమ్మడిగా అనుభవిస్తూ, ఒకరి దుక్కికి మరొకరు బదులు వెళ్ళే బంధువర్గమే ఐల్యు. ప్రతి ఐల్యు తన ఇళ్ళలోని మగవారిని వంతులవారీగా రాజు పొలాలకు, రహదారులకు, గనులకు, సైన్యానికి పంపేది. ఈ వంతు పనికి మీతా అని పేరు. మన వెట్టితో దీన్ని పోల్చాలనిపించడం సహజమే గాని, వంతుకు వెళ్ళినవాడికి తిండి, మొక్కజొన్న బీరు, పనిముట్లు ఇచ్చే బాధ్యత రాజుదే కావడం, వంతు ముగియగానే అతడు తన ఊరికీ తన చేనికీ తిరిగి వెళ్ళడం ఇందులోని ముఖ్యాంశాలు. ఈ ఇళ్ళన్నిటినీ పదులుగా, వందలుగా, వేలుగా విభజించి, కిపు అనే ముడుల తాళ్ళ మీద లెక్క నిలిపేవారు. ఆ లెక్కకు వెలుపల ఉండిపోయిన మనిషి యానా.

యానా అంటే తన ఐల్యు నుంచి వేరై, వంతు లేకుండా, జీవితకాలమంతా ఒక ప్రభువుకో, ఒక దేవస్థానానికో, ఒక రాజవంశానికో కొలువు చేసే వ్యక్తి. స్పానిష్ పత్రాలు ఇతన్నే యానకోనా అన్నాయి, తరువాతి రచయితలు కొందరు బానిస అన్నారు, మరికొందరు సేవకుడు అన్నారు. రెండు మాటలూ అసలు విషయాన్ని దాటవేస్తాయి. యానాను అమ్మిన దాఖలా ఇంకాల కాలంలో కనిపించదు. చేసే పనిని బట్టి చూస్తే కొందరు యానాలు పశువుల కాపరులు, కొందరు రాజుగారి పల్లకి వెంట నడిచేవారు, కొందరు కోశాగారాలకు కావలివారు, కాబట్టి పని కూడా వారిని నిర్వచించదు. వారందరికీ ఉమ్మడిగా ఉన్నది ఒక్కటే: వెనక్కి వెళ్ళడానికి ఊరు లేకపోవడం, ఆ ఊరి లెక్కలో పేరు లేకపోవడం. తరువాతి నాలుగు శతాబ్దాలలో వారికి దక్కిన లాభం, పట్టిన గతి రెండూ దీని నుంచే వచ్చాయి.

యానాల పుట్టుక గురించి స్పానిష్ చరిత్రకారుడు సర్మియెంతో దె గాంబోవా 1572లో నమోదు చేసిన కథ ఒకటి ఉంది. తుపాక్ ఇంకా యుపాంకి అనే చక్రవర్తి తన సోదరుణ్ణి రాజ్యమంతా తనిఖీకి పంపితే, అతడు ఆ అధికారాన్ని అడ్డం పెట్టుకుని తిరుగుబాటుకు జనాన్ని కూడగట్టాడని, కుట్ర బయటపడ్డాక చక్రవర్తి సోదరుణ్ణి చంపించి, అతని అనుచరులను కూడా యానయాకు అనే చోట హతమార్చబోతే పట్టపురాణి అడ్డుపడి వారి ప్రాణాలను యాచించిందని, అలా బతికి బయటపడ్డవారే రాజసేవకులయ్యారని ఆ కథ చెబుతుంది. ఇది ఇంకాల రాజధాని కుస్కో నగరపు ప్రభువంశాలు తమకు అనుకూలంగా చెప్పుకున్న కథలా ఉంది. చావవలసిన ప్రాణం రాజు దయ వల్ల దక్కినప్పుడు ఆ ప్రాణం రాజుదే అవుతుందన్న వాదనకు ఇంతకంటే మంచి కథ దొరకదు. అయితే తితికాకా సరస్సు పడమటి ఒడ్డున ఉన్న లుపాకా ప్రభువుల గురించి 1567లో స్పానిష్ అధికారి గార్సి దియెజ్ జరిపిన విచారణలో, ఆ స్థానిక ప్రభువులకు కూడా తమ మందలు కాసే యానాలు ఉన్నట్టు తేలింది. కాబట్టి ఇంకాలు ఈ పద్ధతిని కొత్తగా కనిపెట్టారనడం కంటే, కురాకాలు అనే స్థానిక నాయకుల ఇళ్ళలో చిన్నపాటి ఆచారంగా ఉన్నదాన్ని రాజ్యస్థాయికి పెంచారనడం సబబుగా తోస్తుంది.

ఆ పెంపు ఎంతటిదో తెలియడానికి పెరూ మధ్య ప్రాంతంలోని వానుకో లోయలో నివసించిన చుపాచు జనుల సాక్ష్యం బాగా పనికొస్తుంది. ఇంకాలకు తామేమి చెల్లించేవారో వారి నాయకులు 1549లో స్పానిష్ అధికారుల ముందు అంశాలవారీగా ఏకరువు పెట్టారు. వైనా కపాక్ చక్రవర్తికి శాశ్వత యానాలుగా నూట యాభై మంది, అతని తండ్రి తుపాక్ ఇంకా యుపాంకి మరణించాక ఆయన దేహానికి కాపలాగా మరో నూట యాభై మంది, ఆయన ఆయుధాల కాపలాకు పదిమంది అంటూ ఆ జాబితా సాగుతుంది. చనిపోయిన రాజు దేహానికి అంతమంది ఎందుకని ఇప్పటి పాఠకుడికి సందేహం రావచ్చు. ఇంకా రాజు మరణించాక అతని భూములు కొత్త రాజుకు దక్కేవి కావు. శుష్కింపజేసి భద్రపరిచిన ఆ దేహం పేరిటే అవి కొనసాగుతూ, అతని సంతతి వారి నిర్వహణలో ఉండేవి. దేహానికి బట్టలు మార్చాలి, భోజనం నివేదించాలి, పండగనాడు కుస్కో చౌకులోకి మోసుకురావాలి, అన్నిటికీ మించి ఆ దేహానికి చెందిన పొలాలు దున్నాలి. కొత్తగా గద్దెనెక్కిన రాజు తన భూములను, తన సేవకులను తానే సంపాదించుకోవాలి గనుక, తరం మారినప్పుడల్లా మరికొన్ని ఐల్యుల నుంచి మరికొంతమంది ఊడిపోయి యానాలయ్యేవారు.

ఈ ఊడిపోవడం ఎలాంటిదో మాచు పిచ్చు సమాధులు చెప్పినంత స్పష్టంగా ఏ పత్రమూ చెప్పదు. పచాకూతి చక్రవర్తి సొంత ఎస్టేటుగా ఇప్పుడు చాలామంది పండితులు భావిస్తున్న ఆ కొండమీది నగరం చుట్టూ ఉన్న గుహల్లో, 1912లో అమెరికన్ అన్వేషకుడు హైరమ్ బింగమ్ బృందం వందకు పైగా సమాధులను తవ్వింది. ఆ ఎముకలను పరిశీలించిన జార్జ్ ఈటన్ అవి అత్యధికంగా స్త్రీలవని తేల్చడంతో, ఆ నగరం సూర్యుడికి అంకితమైన కన్యల ఆశ్రమమనే కథనం పత్రికల్లో వ్యాపించి దశాబ్దాలపాటు నిలిచింది. తరువాత జాన్ వెరానో చేసిన పునఃపరిశీలనలో స్త్రీ పురుషుల సంఖ్య దాదాపు సమంగానే ఉందని తేలింది. ఆండీస్ ప్రజల కురచ ఎముకలను అలవాటులేని కన్ను స్త్రీల ఎముకలుగా పొరబడి ఉంటుంది. సమాధుల్లో బంగారం లేదు. వేర్వేరు ప్రాంతాల పనితనం కనిపించే మట్టి కుండలు, బట్టలకు గుచ్చుకునే లోహపు పిన్నులు వంటి మామూలు సామాను ఉంది. 2023లో ప్రచురితమైన జన్యు పరిశోధన అక్కడి ముప్పైనాలుగు మందిని పరీక్షించగా, వారు ఆండీస్ తీరప్రాంతం నుంచి అమెజాన్ అడవుల దాకా సామ్రాజ్యపు నలుమూలల నుంచి వచ్చినవారని, వారిలో దగ్గరి రక్తబంధువులు దాదాపు లేరని, కనిపించిన ఒకే ఒక జంట తల్లీకూతుళ్ళని వెల్లడైంది. బంధుత్వమే అన్నిటికీ పునాదిగా ఉన్న సమాజంలో, బంధువులు కానివారంతా ఒకే చోట బతికి ఒకే చోట సమాధి కావడమంటే ఏమిటో ఈ ఒక్క ఫలితం చాలు తెలియజేయడానికి.

స్త్రీల విషయంలో దీనికి సమాంతరంగా మరో వ్యవస్థ నడిచింది. ఊళ్ళ నుంచి చిన్న వయసులోనే ఎంపికచేసి తెచ్చిన ఆడపిల్లలను అక్ల్యాలు అనేవారు. ప్రాకారం లోపల ఉంచి వారికి సన్నని వస్త్రం నేయడం, చిచా అనే మొక్కజొన్న బీరు కాచడం నేర్పేవారు. వానుకో పంపా అనే ఇంకా నగరంలో, ఒకే ద్వారం ఉన్న ప్రాకారం లోపల సుమారు యాభై కట్టడాలూ, నూలు వడికే, నేసే పనిముట్లూ, పెద్ద పెద్ద జాడీలూ బయటపడ్డాయి. రాజు సైనికుడికి కానుకిచ్చిన వస్త్రం, వంతు పనివాడికి పోసిన బీరు ఇలాంటి ఇళ్ళ నుంచే వచ్చాయి గనుక, మీతా వ్యవస్థ చూపిన ఉదారత వెనుక ఊరికి తిరిగి వెళ్ళలేని ఈ ఆడవారి శ్రమ ఉందని మరచిపోకూడదు.

ఊరు లేకపోవడం ఒక్కోసారి మెట్టెక్కడానికి కూడా ఉపకరించింది. ప్రతిఘటించిన స్థానిక నాయకుణ్ణి తొలగించినప్పుడు, ఆ స్థానంలో తన యానాను కురాకాగా నిలబెట్టే అలవాటు ఇంకా రాజులకు ఉండేది. ఇప్పటి లీమా నగరానికి ఉత్తరాన ఉన్న కొలీకెలో ఇదే జరిగిందని పెరూ చరిత్రకారిణి మరియా రోస్త్వొరోవ్‌స్కీ చూపారు. తనవాళ్ళంటూ ఎవరూ లేనివాడు తనను నిలబెట్టినవాణ్ణి కాదని ఎక్కడికీ పోలేడన్నది ఆ ఏర్పాటులోని లెక్క.

1532 నవంబరులో కహమార్కా దగ్గర స్పానిష్ దండనాయకుడు ఫ్రాన్సిస్కో పిసార్రో అతవాల్పా చక్రవర్తిని బంధించాక ఈ లెక్క తిరగబడింది. నిలబెట్టినవాడే కూలిపోవడంతో యానాలు వేల సంఖ్యలో కొత్త ప్రభువుల పంచన చేరారు. దీన్ని ద్రోహమనడం తేలిక గాని, అంతకుముందే ఊరినుంచి తెంచి తెచ్చిన మనిషి ఏ ఊరికి ద్రోహం చేశాడో చెప్పడం అంత తేలిక కాదు. 1536లో తిరగబడిన ఇంకా రాజు మాంకో ఇంకా కుస్కోను ముట్టడించినప్పుడు లోపల చిక్కుకున్న స్పానియార్డులు రెండు వందలకు లోపే. వారు నెలల తరబడి నిలవగలిగింది యానాలు, ఇతర దేశీయ మిత్రులు కలిసి పోరాడి, మేత తెచ్చి, కబుర్లు చేరవేసినందువల్లనే. 1540లో మరో స్పానిష్ దండనాయకుడు పేద్రో దె వాల్దీవియా చిలీ మీదికి కదిలినప్పుడు అతని వెంట ఉన్న స్పానియార్డుల కంటే యానాలు ఎన్నో రెట్లు ఎక్కువ. అక్కడి దేశీయులైన మపూచే జనంలోని ఒక కుర్రవాడు వాల్దీవియా దగ్గర గుర్రాల సేవకుడిగా ఉండి, గుర్రం అలసట ఎక్కడో, తుపాకీ ఆలస్యం ఎక్కడో దగ్గరగా చూసి, పారిపోయి తన జనాన్ని సమీకరించి, 1553 డిసెంబరులో తుకపేల్ దగ్గర ఆ పాత యజమాని సైన్యాన్ని తుడిచిపెట్టాడు. వాల్దీవియా ప్రాణాలు కోల్పోయిన ఆ పోరులో గెలిచిన కుర్రవాడు లౌతారో. తిరిగి వెళ్ళడానికి జనమున్న సేవకుడికీ, లేని సేవకుడికీ మధ్య దూరం అతని కథలో కనిపిస్తుంది.

యానాలకు నిజంగా మంచి రోజులు వచ్చిన చోటు ఏదైనా ఉంటే అది ఇప్పటి బొలీవియాలోని పొతోసీ. 1545లో అక్కడి కొండలో వెండిని మొదట కనుగొన్నది ఒక స్పానియార్డు కొలువులో ఉన్న దియేగో వల్పా అనే దేశీయుడని సంప్రదాయం చెబుతుంది. తొలి పాతికేళ్ళపాటు వెండి తీసే విద్య పూర్తిగా దేశీయుల చేతుల్లోనే ఉంది. వాయిరా అనే మట్టి కొలిమికి చుట్టూ రంధ్రాలు చేసి, గాలి బలంగా వీచే కొండ చరియల మీద నిలిపి, గాలినే తిత్తిగా వాడుకుని ఖనిజం కరిగించేవారు. ఆ కాలపు రచయితలు ఇలాంటి కొలుములు ఆరు వేలకు పైగా ఉండేవని రాశారు. యూరపు నుంచి తెచ్చిన తిత్తులతో అక్కడి ఖనిజం కరగకపోవడంతో స్పానియార్డు గని యజమానిగా ఉండి కూడా, తన యానా దగ్గర వారానికి ఇంత వెండి అని ఒప్పుకుని, మిగిలిందంతా అతనికే వదలవలసి వచ్చేది. పొతోసీ సంతలో ఖనిజాన్ని, కోకా ఆకును అమ్మి కొని, ఇల్లు కట్టుకుని, స్పానిష్ పట్టుబట్టలు తొడిగిన యానాలు ఆ రోజుల్లో ఉన్నారు. ఊరి కురాకాకు కట్టవలసిన కప్పం కూడా వారికి లేదు.

1569 నుంచి 1581 వరకు పెరూ వైస్రాయిగా, అంటే స్పెయిన్ రాజు ప్రతినిధిగా ఉన్న ఫ్రాన్సిస్కో దె తొలేదో ఈ స్థితిని తలకిందులు చేశాడు. పాదరసంతో వెండిని వేరుచేసే పద్ధతి 1572లో పొతోసీకి రావడంతో కొలిమి విద్య విలువ పడిపోయింది; కావలసింది నైపుణ్యం కాదు, బరువు మోసే వేలాది చేతులు. అందుకు తొలేదో ఇంకాల మీతాను పేరుతో సహా తీసుకుని, పదహారు మండలాల ఊళ్ళ నుంచి ఏటా పదమూడు వేలకు పైగా మగవారు గనులకు రావాలని శాసించాడు. తిండి పెట్టే బాధ్యత మాత్రం ఆ పేరుతోపాటు రాలేదు. యానాల కోసం 1574లో వేరే నిబంధనలు వెలువడ్డాయి. పొతోసీ ఉన్న చార్కాస్ ప్రాంతపు వ్యవసాయ క్షేత్రాల్లో ఉన్న యానాకు యజమాని కొంత చేను, బట్ట, జబ్బు చేస్తే మందు ఇవ్వాలి, అతన్ని వెళ్ళగొట్టకూడదు. యానా కూడా ఆ క్షేత్రాన్ని వదిలిపోకూడదు. రక్షణగా చెప్పిన మాట, బంధనంగా వేసిన ముడి ఒకే వాక్యంలో ఉండటం ఈ నిబంధనల విశేషం. క్షేత్రాన్ని అమ్మేటప్పుడు అందులోని దేశీయుల పేర్లను విక్రయ పత్రంలో చేర్చకూడదని స్పెయిన్ రాజులు పదేపదే ఉత్తర్వులు జారీచేయవలసి వచ్చిందంటే, జరుగుతున్నదేమిటో ఆ ఉత్తర్వులే ఒప్పుకుంటున్నాయి.

అయినా జనం యానాలు కావడానికే పరుగెత్తారు. ఊరి పట్టీలో పేరున్నవాడికి గని తప్పదు. క్షేత్రంలో యానాగా చేరినవాడికి, పరాయి ఊరికి వలసపోయి ఫొరాస్తేరో, అంటే బయటివాడు, అనిపించుకున్నవాడికి ఆ వంతు లేదు. గని సొరంగంలో నెలల తరబడి బరువు మోసే వంతు కంటే క్షేత్ర యజమాని చాకిరీ మేలని లెక్కవేసుకున్నవారు పదిహేడో శతాబ్దంలో ఎంతమందంటే, గనులకు మనుషులను పంపవలసిన ఊళ్ళు ఖాళీ అయి, మిగిలినవారి మీద వంతు మరింత బరువై, ఆ బరువు మరికొందరిని తరిమింది. 1680లలో వైస్రాయి పలాతా దొర కొత్త జనాభా లెక్క జరిపించి, ఈ బయటివారిని కూడా మీతా పట్టీలోకి లాగాలని చూశాడు గాని, క్షేత్ర యజమానులు, కురాకాలు, ఆ బయటివారు తలా ఒక దారిలో ప్రతిఘటించడంతో తరువాతి వైస్రాయి ఆ ప్రయత్నాన్ని చాలావరకు వెనక్కి తీసుకున్నాడు.

స్పెయిన్ నుంచి స్వాతంత్ర్యం వచ్చాక చట్టం ఒకదారిన, క్షేత్రం ఒకదారిన నడిచాయి. 1825లో స్వాతంత్ర్య పోరాట నాయకుడు సిమోన్ బొలీవార్ కుస్కోలో ఉచిత చాకిరీని నిషేధించినా, కౌలు చేను దక్కడానికి వంతులవారీగా దొర ఇంటి పని చేసే పోంగోల పద్ధతి బొలీవియాలో 1945లో రద్దుకు నోచుకుని, 1953 భూసంస్కరణల తరువాతే నిజంగా సడలింది. పెరూ తీరంలోని పత్తి క్షేత్రాల్లో పాలుకు చేసే రైతును ఇరవయ్యో శతాబ్దంలోనూ యానకోనా అనే పిలిచారు; అతని ఒప్పందాలకు 1947లో ప్రత్యేక చట్టమే వచ్చింది, 1969 భూసంస్కరణతో ఆ పద్ధతి ముగిసింది. చిలీలో మపూచే ప్రజలు దొరల పక్షం వహించిన తమవాణ్ణి తిట్టడానికి ఇప్పటికీ ఆ పేరే వాడతారు. దక్షిణ కొలంబియాలో సంగతి వేరు: క్విటో నుంచి వచ్చి 1537లో పొపయాన్ నగరాన్ని స్థాపించిన స్పానిష్ దండనాయకుడు సెబాస్తియాన్ దె బెలల్కాసార్ వెంట నడిచిన సేవకుల పేరును కౌకా ప్రాంతపు కొండవాసులు తమ జాతి పేరుగా నిలుపుకున్నారు, యానకోనాలుగా తమ సొంత పంచాయతీలు ఏర్పరచుకుని, ఉమ్మడి భూమి హక్కు మీద ఆ దేశపు ప్రభుత్వంతో ఈనాటికీ వాదిస్తున్నారు.