ఈతబావి నుంచి ఈతకొలనుకు: పటాన్‌చెరు – భానూర్ ప్రాంతంలో ఈతవిద్య వ్యాపారమైన క్రమం

వ్యాససంగ్రహం:

తెలంగాణ పల్లెల్లో ఈత నేర్చుకోవడానికి ఒకప్పుడు ఎవరూ రుసుము చెల్లించలేదు. నేడు సంగారెడ్డి జిల్లా పటాన్‌చెరు, భానూర్ పరిసరాల్లో ఈత అంటే నెలకింతని కట్టి నేర్చుకొనే శిక్షణ. ఈ మార్పును క్రీడాభివృద్ధిగానో, నగరీకరణ ఫలితంగానో వివరించడం పరిపాటి. ఆ వివరణ అసంపూర్ణమనీ, ఊరుమ్మడి నీరు ఈతకు పనికిరాకుండా పోవడమే ఈ వ్యాపారానికి పునాది అనీ ఈ వ్యాసం ప్రతిపాదిస్తుంది. బావిలో సాగిన బోధన, పారిశ్రామికీకరణ వల్ల నీటికి కలిగిన నష్టం, ఈతబడుల ప్రపంచచరిత్ర, వాటి ఆదాయవ్యయాల తీరు అనే నాలుగు అంశాలను ఇందులో పరిశీలించడం జరిగింది.

కీలకపదాలు: ఈత, మోటబావి, చెరువు, పటాన్‌చెరు, భానూర్, ఈతకొలను, శిక్షణ వ్యాపారం.

1. ఉపోద్ఘాతం:

'ఈతకు మించిన లోతు లేదు, గోచికి మించిన దారిద్ర్యం లేదు' అని తెలుగులో ఒక సామెత ఉంది. ఈదవలసినంత లోతు వచ్చాక ఇక ఎంత లోతైనా ఒకటే. గోచీ మాత్రమే మిగిలాక అంతకన్న దిగజారడానికి పేదరికంలో చోటు లేదు. సామెత తాత్పర్యం ఇదే అయినా, అది ఈతనూ గోచీనీ పక్కపక్కన నిలపడం గమనించదగినది. ఈ రెండూ ఒకే మనిషి అనుభవంలోనివి. ఈదడానికి గోచీకి మించిన సరంజామా అక్కరలేని సమాజంలో పుట్టిన మాట ఇది.

నేటి ఈతకొలనులో దిగాలంటే ఈతదుస్తులు, టోపీ, కళ్ళద్దాలు, ప్రవేశరుసుము, నెలరుసుము కావాలి. గోచీవాడి విద్య గోచీవాడికి అందని విద్యగా ఎలా మారింది? ఈ ప్రశ్నకు సమాధానం వెదకడానికి పటాన్‌చెరు మండలంలోని భానూర్, దాని చుట్టుపక్కల పారిశ్రామిక ప్రాంతం అనువైన క్షేత్రం. పల్లె, కర్మాగారం, కంపెనీ టౌన్‌షిప్, ప్రహరీల నడుమ వెలసిన కొత్త నివాస సముదాయాలు ఇక్కడ కొద్ది మైళ్ళ దూరంలోనే ఒకదానిపక్కన ఒకటి కన్పిస్తాయి.

2. నీటి పేరు పెట్టుకొన్న ఊరు:

కల్యాణీ చాళుక్యుల శాసనాల్లో కన్పించే 'పొట్టలకెరె' నేటి పటాన్‌చెరేనని చరిత్రకారులు గుర్తించారు. కన్నడంలో 'కెరె' అన్నా తెలుగులో 'చెరువు' అన్నా ఒకటే. పాలకులు, భాషలు మారినా ఊరి పేరులో నీరు నిలిచే ఉంది.

ఆ చాళుక్య వంశానికే చెందిన మూడవ సోమేశ్వరుడు 12వ శతాబ్దిలో సంతరించిన 'మానసోల్లాసం' రాజు జలక్రీడను వర్ణించింది. భారతం ఆదిపర్వంలో భీముడు కౌరవులతో గంగలో ఆడిన జలక్రీడ ప్రసిద్ధం. ఈ రెండు చోట్లా నీరు విహారస్థలమే. ఈత ఎవరు నేర్పారు, ఎలా నేర్పారు అన్నది ఇటువంటి వర్ణనల పరిధిలోకి రాదు. అందువల్ల ఈతబోధన చరిత్రను గ్రంథాలకన్న పనిముట్లలో, పలుకుబళ్ళలో, పెద్దల జ్ఞాపకాల్లో వెదకవలసి ఉంటుంది.

3. బావే బడి:

తెలంగాణ మెట్టసీమలో పిల్లలకు ఈత నేర్పిన ప్రధానస్థలం మోటబావి. చెరువు విశాలమైనది; అడుగున పూడిక, తూడు, తామరతీగెలు ఉంటాయి. బావికి హద్దు ఉంది, పట్టుకోవడానికి దరి ఉంది, ఎక్కడానికి మెట్లున్నాయి. దరిమీద కూర్చున్న పెద్దవారికి పిల్లవాడు ఎప్పుడూ కనబడుతూనే ఉంటాడు. వేసవిలో నీటిమట్టం తగ్గినప్పుడు, బడికి సెలవులున్నప్పుడు ఈ బోధన సాగేది.

పద్ధతి కూడా క్రమబద్ధమైనదే. పిల్లవాడి నడుముకో వీపుకో బెండ్లు గాని, ఎండిన ఆనిగెపుకాయ బుర్ర గాని, మూత బిగించిన రేకుడబ్బా గాని కట్టేవారు. ఆ తరువాతి కాలంలో లారీ ట్యూబు వచ్చింది. నడుముకు కట్టిన తాడు కొస అన్న చేతిలోనో, మేనమామ చేతిలోనో ఉండేది. బారలు వేయడం అలవాటైనకొద్దీ బెండ్లు ఒక్కొక్కటిగా తీసివేసేవారు. చివరి బెండు తీసిన రోజే పట్టా పొందిన రోజు. ఆధునిక శిక్షణలో తేలుడు పరికరాలను క్రమంగా తగ్గించే పద్ధతికీ దీనికీ సూత్రంలో భేదం లేదు. ఈ వ్యాసకర్తకు ఈత వచ్చింది అటువంటి బావిలోనే. గురువు పినతండ్రి, గురుదక్షిణ మరునాడు ఆయన ఎడ్లను కడగడం.

అయితే ఈ బావి బడి అందరిదీ కాదు. బావి ఎవరి పొలంలో ఉందన్నదానినిబట్టి అందులో ఎవరు దిగవచ్చో నిర్ణయమయ్యేది. దళితుల పిల్లలకు ఎన్నో బావుల దరి కూడా నిషిద్ధమే. ఆడపిల్లలకు ఈత నేర్పడం అరుదు. నీటితో బతికే గంగపుత్ర, ముదిరాజ్ వంటి కులాల్లో ఈత వృత్తిలో భాగం. బావుల్లో ప్రాణాలు పోయిన పిల్లలూ ఉన్నారు. కాబట్టి గతాన్ని ఆదర్శంగా చిత్రించడం ఇక్కడ ఉద్దేశం కాదు. ఈత అప్పుడు బంధుత్వం, కులం, ఇరుగుపొరుగుల ద్వారా అందేదనీ, డబ్బు ద్వారా కాదనీ మాత్రమే ఇక్కడ గుర్తించవలసిన విషయం.

4. నీరు చేజారిన విధం:

1960ల నుంచి ఈ ప్రాంతం రూపురేఖలు మారాయి. రామచంద్రాపురంలో బి.హెచ్.ఇ.ఎల్. కర్మాగారం వచ్చింది. 1972లో పటాన్‌చెరు వద్ద ఇక్రిశాట్ ఏర్పడింది. 1970లో స్థాపితమైన భారత్ డైనమిక్స్ సంస్థ కంచన్‌బాగ్ తరువాత భానూర్‌లో క్షిపణుల తయారీ విభాగాన్ని నెలకొల్పింది. పటాన్‌చెరు, బొల్లారం పారిశ్రామికవాడల్లో రసాయన, ఔషధ కర్మాగారాలు పెరిగాయి.

వాటి వ్యర్థజలం మంజీరకు ఉపనది అయిన నక్కవాగులోకి, దాని పరివాహకంలోని కుంటలలోకి చేరింది. పటాన్‌చెరు కాలుష్యంపై 1990లో సుప్రీంకోర్టులో దాఖలైన ప్రజాప్రయోజన వ్యాజ్యం 2001లో హైకోర్టుకు బదిలీ అయింది. వ్యర్థజలాల ఉమ్మడి శుద్ధికేంద్రం 1994లో ఏర్పడింది. అయినా, స్వీడన్‌కు చెందిన లార్సన్ బృందం 2007లో ప్రచురించిన పరిశోధన ఆ కేంద్రం నుంచి శుద్ధి అయి బయటికి వచ్చిన నీటిలోనే సిప్రోఫ్లాక్ససిన్ అనే ఔషధం లీటరుకు 31 మిల్లీగ్రాముల దాకా ఉన్నట్లు తెలిపింది. కొన్ని సూక్ష్మజీవులకు విషమయ్యే మోతాదుకు అది వెయ్యిరెట్లకు పైమాట.

ఇదే కాలంలో బోరుబావి మోటబావిని వెనక్కి నెట్టింది. భూగర్భజలం కిందికి పోగా, మోటబావులు ఎండి చెత్తకుండీలయ్యాయి, కొన్ని పూడిపోయాయి. ఔటర్ రింగురోడ్డు వచ్చాక పొలాల ధర పెరిగి, బావి ఉన్న చెలక ప్లాటుగా మారింది. వాగుదగ్గర ఊళ్ళకు కాలుష్యం, మెట్టమీది ఊళ్ళకు బోరు, రోడ్డుపక్క ఊళ్ళకు స్థిరాస్తి వ్యాపారం — కారణం ఏదైనా, పిల్లవాడు దిగదగిన నీరు మాత్రం మిగల్లేదు. ఈతబడి ఇక్కడికి రాకముందే ఈతబావి పోయింది. ఈ కాలక్రమమే ఈ వ్యాసానికి కీలకం.

5. ఈత అమ్మకపు సరుకైన చరిత్ర:

డబ్బుకు ఈత నేర్పడం పాశ్చాత్యదేశాల్లో పాత ఆలోచనే. 1726లో లండన్‌లో ఉన్న యువకుడు బెంజమిన్ ఫ్రాంక్లిన్‌ను, తన కుమారులిద్దరికీ ఈత నేర్పవలసిందిగా ఒక ప్రభువు కోరాడు. ఇంగ్లండులోనే ఉండి ఈతబడి తెరిచి ఉంటే చాలా డబ్బు సంపాదించి ఉండేవాడినని ఫ్రాంక్లిన్ తన ఆత్మకథలో తలపోశాడు. 1780లలో పారిస్‌లో టుర్కాఁ అనే స్నానశాలల యజమాని సేన్ నదిలో తేలే ఈతబడిని నడిపాడు. 1817లో ప్రష్యా సేనాని ఫాన్ ఫూల్ బెర్లిన్‌లో సైనికులకు ఈతబడి స్థాపించాడు. 1879లో ఆస్ట్రేలియా చేరిన ఫ్రెడరిక్ కావిల్ సిడ్నీలో ఈతశాల నడిపి, కుటుంబమంతటికీ దాన్నే జీవనోపాధి చేశాడు.

వీటిలో పారిస్ బడి నదిలోనే ఉండటం గమనార్హం. ఉన్న నీటి దగ్గర బోధనకు మాత్రమే అక్కడ వెల కట్టారు. మన ప్రాంతపు ఈతబడి బోధనతోపాటు నీటిని కూడా అమ్మవలసి వచ్చింది.

భారతదేశంలో 1961లో పటియాలాలో జాతీయ క్రీడాసంస్థ ఏర్పడి, శిక్షకవృత్తికి పట్టాను, హోదాను ఇచ్చింది. హైదరాబాదులో 2002లో జరిగిన జాతీయ క్రీడల కోసం గచ్చిబౌలిలో జలక్రీడల ప్రాంగణం వెలసింది. నగరం పడమటికి విస్తరించినకొద్దీ ప్రైవేటు పాఠశాలలు, నివాససముదాయాలు తమ ప్రకటనల్లో ఈతకొలనును ఒక ఆకర్షణగా చూపసాగాయి. కొలను కట్టినవారు దానిని నడపలేరు. నడపగలవారికి కొలను ఉండదు. ఈ లోటునుంచే కొలనును గుత్తకు తీసుకొని బ్యాచులవారీగా ఈత నేర్పే సంస్థలు పుట్టాయి.

6. ఈతబడి ఆదాయవ్యయాలు:

ఈతబడిని లాభాల గనిగా భావించేవారు దాని లెక్కలు చూడాలి. 25 మీటర్ల పొడవు, 12.5 మీటర్ల వెడల్పు, సగటున 1.2 మీటర్ల లోతు ఉన్న కొలనులో 3,75,000 లీటర్ల నీరు పడుతుంది. 5,000 లీటర్ల ట్యాంకర్లతో నింపితే 75 ట్యాంకర్లు. వేసవిలో రోజుకు 6 మిల్లీమీటర్ల నీరు ఆవిరైనా దాదాపు 1,900 లీటర్లు మళ్ళీ పోయాలి. నీటిని ఇసుకవడపోతల గుండా నిరంతరం తిప్పాలి. క్లోరిన్ తగ్గితే రోగం, పెరిగితే కళ్ళమంట. విద్యుత్తు, రసాయనాలు, ప్రాణరక్షకుడి జీతం — కొలనులో పదిమంది ఉన్నా యాభైమంది ఉన్నా ఈ ఖర్చులు ఇంచుమించు ఒకటే.

ఆదాయం మాత్రం ఋతువును అనుసరిస్తుంది. మార్చి నుంచి జూన్ మొదటివారం దాకా పిల్లలు వస్తారు. బడులు తెరిచి వానలు పడగానే కొలను ఖాళీ అవుతుంది. మూడు నెలల రాబడితో పన్నెండు నెలలు నెట్టుకురావాలి. జి.ఎస్.టి. విధానంలో క్రీడాశిక్షణ ఇచ్చే నమోదిత ధర్మసంస్థకు పన్ను మినహాయింపు ఉంది, వ్యాపారసంస్థకు లేదు. శిక్షకుడిది కూడా వేసవి కూలీవంటి బతుకే. తక్కిన కాలంలో వేరే పని వెదుక్కోవాలి.

ఈ లెక్కలు బోధన స్వరూపాన్ని కూడా నిర్ణయిస్తాయి. బ్యాచు పెద్దదవుతుంది, గడువు కొద్దిరోజులకు కుదించుకుపోతుంది, కొలను ఈ దరినుంచి ఆ దరికి చేరడమే ఉత్తీర్ణతకు కొలమానమవుతుంది. బావిలో తాడు పట్టిన మేనమామకు శిష్యుడు ఒక్కడే, గడువు లేదు. అడుగు కనిపించే నీలినీటిలో నేర్చిన ఈత, అడుగు తెలియని క్వారీ గుంతలో ఎంతవరకు అక్కరకొస్తుందన్నది శిక్షకులే ఆలోచించవలసిన విషయం. అయితే ఒక మేలును ఒప్పుకోవాలి. బావి బడి బయట నిలబెట్టిన ఆడపిల్లలకు ఈతకొలను తలుపు తెరిచింది. రుసుము కట్టగలిగితే అక్కడ కులమేదని అడిగేవారూ లేరు. పాత అడ్డుగోడ స్థానంలో డబ్బు అనే కొత్త గోడ లేచింది.

7. గోడకు ఈవల:

ఈ గోడకు ఈవల ఎవరున్నారు? భానూరుకు సమీపంలోని కొల్లూరులో 2023 జూన్ 22న ప్రారంభమైన రెండు పడకగదుల ఇళ్ళ సముదాయంలోనే 15,660 ఇళ్ళున్నాయి. కర్మాగారాల చుట్టూ ఇతర రాష్ట్రాలనుంచి వచ్చిన కార్మికుల కుటుంబాలున్నాయి. వీరి పిల్లలకు మోటబావీ లేదు, ఈతకొలనూ లేదు. వానాకాలంలో నిండే క్వారీ గుంతలు, మట్టి తవ్విన గోతులు ఉన్నాయి. లోతు మిగిలింది, ఈత మిగల్లేదు.

ప్రపంచ ఆరోగ్యసంస్థ 2024 నివేదిక ప్రకారం 2021లో ప్రపంచంలో సుమారు 3 లక్షలమంది నీటమునిగి చనిపోయారు. ఐక్యరాజ్యసమితి 2021లో జూలై 25ను నీటిమునక నివారణ దినంగా ప్రకటించింది. భారత ఆరోగ్యమంత్రిత్వశాఖ కూడా 2023 డిసెంబరులో నివారణ ప్రణాళికను వెలువరించింది. పాఠశాల వయసు పిల్లలకు ప్రాథమిక ఈత నేర్పాలన్నది ప్రపంచ ఆరోగ్యసంస్థ సూచనల్లో ఒకటి.

దీనికి ఖరీదైన కొలనే అక్కరలేదని బంగ్లాదేశ్ నిరూపించింది. అక్కడ 'స్విమ్‌సేఫ్' కార్యక్రమంలో ఊరి కుంటలోనే వెదురుతో వేదిక, కంచె కట్టి, స్థానిక యువకులకు తర్ఫీదునిచ్చి, వారిచేత పిల్లలకు ఈత నేర్పించారు. మన బావి బడిలోని దరి, తాడు, పెద్దవాడు అనే మూడు అంశాలే అక్కడ సంస్థారూపం పొందాయి. తెలంగాణలో 2015లో మొదలైన మిషన్ కాకతీయ 46 వేలకు పైగా చెరువుల పునరుద్ధరణను లక్ష్యంగా పెట్టుకొంది. పటాన్‌చెరు సమీపంలోని అమీన్‌పూర్ చెరువు 2016లో జీవవైవిధ్య వారసత్వస్థలంగా గుర్తింపు పొందింది. సాగుకు, చేపలకు, పక్షులకు చెరువును తిరిగి ఇవ్వాలని తలచినవారు, అందులో ఒక శుభ్రమైన మూలను పిల్లల ఈతకు కేటాయించడం గురించీ ఆలోచించవలసి ఉంది.

8. ముగింపు:

పై పరిశీలన వల్ల మూడు విషయాలు తేలుతున్నాయి. మొదటిది, పటాన్‌చెరు – భానూర్ ప్రాంతంలో ఈతశిక్షణ వ్యాపారం ఊరి నీరు పోయిన ఖాళీలో పుట్టింది. ఆ నీరు పోవడానికి ఈతబడి కారణం కాదు. రెండవది, ఎత్తైన స్థిరవ్యయం, మూడు నెలల ఋతువు ఉన్న ఈ వ్యాపారం తనంతట తాను పేదపిల్లల దాకా చేరలేదు. దాన్ని నిందించడంవల్ల ప్రయోజనం లేదు. మూడవది, బావి బడిలోని బోధనాపద్ధతి, దాని పదజాలం నమోదుకాకుండానే కనుమరుగవుతున్నాయి. బెండు కట్టి ఈత నేర్పినవారు ఇంకా మన ఊళ్ళలో ఉన్నారు. జానపద విజ్ఞానం, మాండలిక పదకోశం, స్థానిక చరిత్రలపై పనిచేసే పరిశోధకులు వారి మాటలను సేకరించడం తక్షణకర్తవ్యం. ఈతకు మించిన లోతు లేదన్న సామెత ఈత వచ్చినవారికే ధైర్యం. ఈత రాని తరానికి మోకాటిలోతు గుంత కూడా లోతే.