ఏటి పేరు మోసిన కోడి

కాకసస్ కొండల్లో పుట్టి జార్జియా దేశం మీదుగా నల్లసముద్రంలో కలిసే ఏరు రియోని. పాతకాలపు గ్రీకులు దాన్ని ఫాసిస్ అనేవారు. ఆ ఒడ్డు పొదల్లో తిరిగే పొడుగుతోక పక్షి వాళ్ల నోట ఫాసియానోస్ అయింది, అంటే ఫాసిస్ ఏటి పిట్ట. బంగారు గొర్రెతోలు కోసం వెళ్లిన వీరులే దాన్ని వెంట తెచ్చారని కథ. ఇంగ్లీషువాళ్ల ఫెజెంట్ ఇదే.

1758లో లిన్నేయస్ దీనికి ఫాసియానస్ కోల్చికస్ అని పేరు పెట్టాడు. కోల్చిస్ ఆ ఏరు పారే సీమే. అక్కడితో ఆగితే బాగుండేది. చెంపల మీద ఈకల్లేని నున్నటి చర్మం కనిపిస్తే చాలనుకుని చైనా బంగారు ఫెజెంటునూ, ఆఫ్రికా గిన్నికోడినీ, చివరికి పెరటి కోడినీ ఒకే గంప కింద కమ్మేశాడు. అప్పుడు కోడి పేరు ఫాసియానస్ గాలస్! రెండేళ్లకే ఫ్రాన్సులో బ్రిసాన్ కోడిని బయటికి తీసి గాలస్ అనే వేరు ప్రజాతి కట్టాడు. అయినా గంప ఖాళీ కాలేదు. 1776లో ముల్లర్ దక్షిణ అమెరికాలో ఆకులు మేసి బతికే హోట్సిన్‌ను కూడా అందులోకే తోశాడు.

మన దేశానికొచ్చిన దొరలదీ అదే తంతు. జెముడుకాకిని 'కాకి ఫెజెంట్' అన్నారు. కొత్తగా ఓడ దిగిన కుర్రాళ్లు నిజం ఫెజెంటే అనుకుని కాల్చి వండుకుని, ఆ రుచికి మొహం చిట్లించేవారట. అది కోకిల కుటుంబానిది. మనమూ కాకి అన్నాం కదా, వాళ్లనొక్కళ్లనే అని లాభం లేదు.

నిజంగా ఫెజెంట్ కుటుంబానికి చెందినవి నెమలి, అడవికోడి, జిట్టకోడి. అడవికోళ్లలో ఎర్రది ఉత్తరాన, బూడిదరంగుది దక్షిణాన. మధ్యన ఇంచుమించు హద్దు మన గోదావరి. బూడిదదే పెంపుడు కోడికి మూలమనుకున్నాడు ఫ్రెంచి యాత్రికుడు సోనెరా. 1813లో టెమ్మింక్ ఆ పక్షికి అతని పేరే పెట్టాడు. డార్విన్ మాత్రం ఎర్రదానివైపు మొగ్గాడు, ఆ మాటే నిలిచింది. కానీ పెంపుడు కోడి పసుపు చర్మానికి కారణమైన జన్యువు బూడిద అడవికోడి నుంచి వచ్చిందని 2008లో తేలింది. సోనెరా మరీ గురి తప్పలేదన్నమాట.

తోక పొడుగైతే ఫెజెంట్, పొట్టిదైతే కౌజు అన్న పాత లెక్క కూడా డీఎన్‌ఏ ముందు నిలవలేదు. కోడికి ఫెజెంట్ కన్నా కౌజే దగ్గరి చుట్టం. ఫారాల్లో పెంచే కౌజు కాదు, చేలగట్ల మీద పొద్దున్నే గొంతు చించుకునేది. సంస్కృతంలో తిత్తిరి. యాజ్ఞవల్క్యుడు కక్కిన యజుస్సులను ఏరుకు తినడానికి తోటి శిష్యులు ఎత్తిన రూపం, తైత్తిరీయానికి పేరిచ్చిన పిట్ట. 1789లో గ్మెలిన్ దానికి పెట్టిన పేరు పాండిసెరియానస్, అంటే పుదుచ్చేరిది.