ఒక వెర్షన్ వెనకే ఉంచారు

మొన్న ఆఫీసు క్యాంటీన్లో 'సైరా' మీద వాదన వచ్చింది. 2019లో వచ్చిన సినిమా, ఇంకా చల్లారలేదు. మా టీములో ఒక కుర్రాడు "మనోళ్ళు కత్తులు పట్టుకుని తుపాకుల మీదికెళ్ళారు సార్, మన దగ్గర కూడా తుపాకులుంటే కథ వేరే ఉండేది" అన్నాడు. నాది బండి ఆత్మకూరు కాబట్టి అందరూ నా వైపు చూశారు, అక్కడికేదో నేను ప్రత్యక్ష సాక్షినన్నట్టు. నోట్లో ముద్ద ఉండి అప్పుడు చెప్పలేకపోయాను. ఇప్పుడు తీరిగ్గా చెప్తాను.

మన దగ్గర తుపాకులు లేవన్నది శుద్ధ తప్పు. ఆ మాటకొస్తే తుపాకి అన్న మాటే తురుష్కుల 'తుఫెక్' నుంచి వచ్చింది. ఫిరంగి అంటే ఫిరంగీవాడు, అంటే ఐరోపావాడు తెచ్చింది. పేర్లలోనే చరిత్ర ఉంది. 1520లో రాయచూరు కోట ముట్టడిలో శ్రీకృష్ణదేవరాయల తరఫున క్రిస్తోవావ్ ద ఫిగైరెదో అనే పోర్చుగీసువాడు కొద్దిమంది తుపాకీ మనుషులతో వచ్చాడు. బురుజుల మీద తల ఎత్తినవాణ్ణి ఎత్తినట్టే కొడుతుంటే, కింద రాయలవారి మనుషులు గోడ రాళ్ళు ఊడదీశారు. కోట వశమైంది.

అసలు చిక్కు ఆ గెలుపుతోనే మొదలైందంటాడు చరిత్రకారుడు రిచర్డ్ ఈటన్. ఓడిన బీజాపూరు వాళ్ళు ఫిరంగుల మీద శ్రద్ధ పెట్టారు, గెలిచిన విజయనగరం పాత పద్ధతిలోనే ఉండిపోయింది. ప్రొడక్షన్లో బాగా నడుస్తున్న కోడుని ఎవడు ముట్టుకుంటాడు చెప్పండి! 1565లో తళ్ళికోట దగ్గర ఫిరంగుల్లో రాగి నాణేలు కూరి మరీ పేల్చారని ఫిరిష్తా రాశాడు. తర్వాత సంగతి మీకు తెలిసిందే.

ఇక మా వైపుకొద్దాం. మా నంద్యాల ప్రాంతం 1839 దాకా కర్నూలు నవాబు కింద ఉండేది. ఆ ఏడాది నవాబు గులాం రసూల్ ఖాన్ రహస్యంగా ఆయుధాలు పోగేస్తున్నాడని తెలిసి కంపెనీ సైన్యం వచ్చింది. చూస్తే కర్నూలు కోటలో ఫిరంగులు పోతపోసే కొలుములున్నాయి, ఆయుధాలు గుట్టలుగా ఉన్నాయి. మరి ఏం జరిగింది? అక్టోబరు 18న జొహరాపురం దగ్గర పోరు జరిగింది, ఆ ఒక్కరోజుతోనే కథ ముగిసింది. నవాబుని తిరుచిరాపల్లికి పంపేశారు. మరుసటి ఏడు అక్కడే హత్యకు గురయ్యాడు.

అంటే ఆయుధాలు ఉన్నా ఓడిపోయాం. ఎందుకు?

పాత జామగీ తుపాకీ కాల్చడం ఎంత ప్రహసనమో చూడండి. గొట్టంలో మందు పొయ్యాలి, గుండు వేసి కడ్డీతో దట్టించాలి, చెవి దగ్గర రంజకం పొయ్యాలి, ఆరిపోకుండా కాపాడుకుంటున్న ఒత్తి తెచ్చి అంటించాలి. వాన పడితే ఇంటికెళ్ళిపోవడమే. పైగా ఒక్కో తుపాకీ ఒక్కో కమ్మరి చేతిపని. పక్కవాడి గుండు నీ గొట్టంలో పట్టకపోవచ్చు. కంపెనీ సిపాయికి మాత్రం అందరికీ ఒకే కొలత గొట్టం, కాగితంలో చుట్టిన రెడీమేడ్ తూటా, రోజూ కవాతు. చెకుముకి రాయితో పేలే ఆ తుపాకీ కూడా వంద గజాలు దాటితే ఎవడికి తగులుతుందో దేవుడికే తెలియాలి. కానీ నిమిషానికి రెండు మూడు సార్లు, వందమంది ఒకేసారి కాలిస్తే గురితో పనేముంది? తేడా తుపాకీలో కంటే దాని వెనకున్న పద్ధతిలో ఉంది.

ఆపైన ఆ తుపాకీ కూడా మారింది. 1834లో ఇంగ్లండులోని వూలిచ్‌లో ఒక పరీక్ష చేశారు. చెకుముకి తుపాకీతో 6,000 సార్లు, కొత్తగా వచ్చిన క్యాపు తుపాకీతో 6,000 సార్లు కాల్చారు. మొదటిది 922 సార్లు పేలలేదు. రెండోది 36 సార్లు. ఎర్రర్ రేటు 15 శాతం నుంచి అర శాతం చిల్లరకి పడిపోయింది! 1842 నాటికి బ్రిటిష్ సైన్యం క్యాపు తుపాకీని ఖాయం చేసేసింది.

ఇప్పుడు ఉయ్యాలవాడ నరసింహారెడ్డి తిరగబడ్డ ఏడాది చూడండి: 1846. కోవెలకుంట్ల వైపు 1800లోనే నిజాం కంపెనీకి దత్తం చేశాడు. పాలెగాళ్ళ సేనల్ని మన్రో కాలంలోనే రద్దు చేసి చేతిలో పింఛను పెట్టారు. అంటే దాదాపు రెండు తరాలుగా కవాతు లేదు, ఆయుధశాల లేదు. అవతలివాడు ఆ మధ్యలో ఎన్ని మెట్లెక్కాడో లెక్కేసుకోండి. అయినా ఆయన కోవెలకుంట్ల ఖజానా కొట్టాడు, గిద్దలూరు దగ్గర పోరాడాడు, నల్లమల కెక్కాడు. 1847 ఫిబ్రవరి 22న కోవెలకుంట్లలో ఉరి తీశారు. తలని 1877 దాకా వేలాడదీసి ఉంచారు. ముప్ఫై ఏళ్ళు! అంత భయం తుపాకీని చూసి కాదు, మనిషిని చూసి.

ఆ భయం 1857 తర్వాత పాలసీ అయింది. ఎన్‌ఫీల్డ్ రైఫిలు గొట్టంలో మెలి గాళ్ళుంటాయి, అందుకే గుండు తిరుగుతూ పోయి దూరాన ఉన్నదాన్ని కూడా కొడుతుంది. తిరుగుబాటు అణిచాక సిపాయిల కోసం 1859లో చేసిన తుపాకీ చూడ్డానికి ఎన్‌ఫీల్డే, లోపల గాళ్ళు మాత్రం లేవు. తెల్ల సోల్జరుకి మార్టినీ-హెన్రీ వచ్చాక సిపాయికి పాత స్నైడరు ఇచ్చారు. వాడికి లీ-మెట్‌ఫోర్డు వచ్చాక వీడికి మార్టినీ దిగింది. ఎప్పుడూ ఒక వెర్షన్ వెనక. ఆఖరికి మన త్రీ నాట్ త్రీని కూడా వదల్లేదు. గొట్టం తొలిచి, మ్యాగజైను మూసేసి, ఒక్కో తూటా పెట్టి కాల్చే ఫోర్‌టెన్ మస్కెట్‌గా మార్చి పోలీసులకిచ్చారు. సాఫ్ట్‌వేర్లో ఫీచర్లు తీసేసి 'లైట్ ఎడిషన్' అమ్మడం మనం కనిపెట్టామనుకుంటాం గానీ, కాదు.

జనానికైతే అదీ లేదు. 1878 ఆయుధాల చట్టంతో తుపాకీ అంటే లైసెన్సు అయింది. అందుకే 1922 ఆగస్టులో అల్లూరి సీతారామరాజు మొదట చేసిన పని చింతపల్లి, కృష్ణదేవిపేట, రాజవొమ్మంగి పోలీసు స్టేషన్ల మీద పడి తుపాకులు పట్టుకుపోవడం. శత్రువు దగ్గర తెచ్చుకుంటే తప్ప లేదు. తూటాలకీ వాడి మీదే ఆధారం.

మా జేజినాయనకి అడవిపందుల కోసం లైసెన్సు తుపాకీ ఒకటి ఉండేది. ఒంటి గొట్టంది, పైనుంచి మందు కూరేది. నరసింహారెడ్డి కాలంలో కంపెనీ వాడిన క్యాపు తుపాకీకి తమ్ముడన్నమాట. నూట ముప్ఫై ఏళ్ళ తర్వాత మా ఊరి రైతుకి చట్టం చేరనిచ్చిన వెర్షన్ అది. ప్రతి ఎన్నికలకీ స్టేషన్లో అప్పజెప్పి రావాలి. ఒకసారి ఆయన వెనకాల నడుచుకుంటూ నేనూ పోయాను. తుపాకీ భుజానున్నంతసేపూ నిటారుగా నడిచిన మనిషి, రసీదు జేబులో పెట్టుకుని వచ్చేటప్పుడు వంగిపోయి నడిచాడు. "నాయనా, అంత దిగులెందుకు, మళ్ళీ ఇస్తారు గదా" అన్నాను. "ఇస్తార్రా. ఇచ్చేది వాళ్ళయినప్పుడు అది నాదెట్లయితాది?" అన్నాడు.

అప్పుడు అర్థం కాలేదు. పెద్దయ్యాక మా చుట్టుపక్కల నాటుబాంబులూ వేటకొడవళ్ళూ చేసిన నిర్వాకం చూశాక, జనం చేతికి తుపాకులు రాకపోవడమే మంచిదయిందని కూడా అనుకున్నాను. ఇప్పటికీ అదే అనుకుంటాను. కానీ క్యాంటీన్లో ఆ కుర్రాడికి మాత్రం రేపు ఒక మాట చెప్పాలి. మనోళ్ళు ఓడింది ధైర్యం లేక కాదు, తుపాకులు లేకా కాదు. కొత్తది తయారుచేసే కొలిమీ, దాన్ని ఎవరికివ్వాలో నిర్ణయించే కలమూ రెండూ అవతలివాడి చేతిలో ఉండబట్టి.

ఈ మాట తుపాకులకే వర్తిస్తుందా? మనం పొద్దున్నుంచీ సాయంత్రం దాకా ఎవరి టూల్స్ మీద, ఎవరి లైసెన్సు మీద పనిచేస్తున్నామో ఒక్కసారి చూసుకుంటే మంచిది.