మేరీలాండ్ గుమ్మం ముందు గురుశిష్యులు

1935 జూన్. అమెరికాలోని మేరీలాండ్ రాష్ట్రం, బాల్టిమోర్ నగర కోర్టు. ఇద్దరు నల్లజాతి లాయర్లు లేచి నిలబడ్డారు. పెద్దాయన చార్లెస్ హామిల్టన్ హ్యూస్టన్. పక్కనున్న కుర్ర లాయరు ఆయన శిష్యుడు థర్‌గుడ్ మార్షల్. డొనాల్డ్ ముర్రే అనే యువకుడికి, నల్లవాడన్న ఒక్క కారణంతో, మేరీలాండ్ విశ్వవిద్యాలయం తన లా కాలేజీలో సీటివ్వనంది. అదీ కేసు.

మార్షల్‌ది బాల్టిమోరే. సొంత ఊళ్లోనే ఉన్న ఆ కాలేజీ గడప తొక్కనివ్వరు గనుక రోజూ రైలెక్కి వాషింగ్టన్‌లోని హోవార్డ్ విశ్వవిద్యాలయానికి వెళ్లి లా చదివాడు. అక్కడ దొరికాడు ఈ గురువు.

హ్యూస్టన్‌లో కోర్టుల్లో పోరాడాలన్న పట్టుదల సైన్యంలో పుట్టింది. మొదటి ప్రపంచ యుద్ధంలో ఆఫీసరుగా ఫ్రాన్స్ వెళ్లి, సొంత సైన్యంలోని తెల్లవాళ్ల చేతుల్లోనే అవమానాలు పడ్డాడు. బతికి బయటపడితే లా చదివి, ఎదురు తిరగలేనివాళ్ల తరఫున పోరాడాలని అక్కడే తీర్మానించుకున్నాడు. హార్వర్డ్ లా రివ్యూ సంపాదకవర్గంలో తొలి నల్లజాతి విద్యార్థి ఆయనే.

1929లో హోవార్డ్ లా కాలేజీ పగ్గాలు చేతికొచ్చాయి. రాత్రి తరగతులు ఎత్తేశాడు. పగలు కూలో నాలో చేసుకునే పేదలు ఎక్కడ చదవాలని అయినవాళ్లే మండిపడ్డారు. ఆయన తండ్రి కూడా రాత్రి తరగతుల్లో చదివి లాయరైనవాడే! అయినా వెనక్కి తగ్గలేదు. 1931కల్లా కాలేజీకి జాతీయ గుర్తింపు వచ్చింది. ఆ కాఠిన్యం కొందరిని నొప్పించింది, నిజమే. కానీ తెల్ల లాయర్లను కోర్టులో నిలదీయగల తరం ఆ తరగతి గదుల్లోనే తయారైంది. ఆయన గెలిచిన ఏ కేసు కన్నా అదే పెద్ద పని అంటాను.

మళ్లీ కోర్టుకు వద్దాం. నల్లవాళ్లను వేరుగా ఉంచినా సమాన వసతులు కల్పిస్తే చాలన్నది 1896 నాటి సుప్రీంకోర్టు తీర్పు. హ్యూస్టన్ ఆ 'సమానం' దగ్గరే పట్టు పట్టాడు. మేరీలాండ్‌లో నల్లవాళ్లకు లా కాలేజీ ఏది? ఒక్కటీ లేదు. జడ్జి యూజీన్ ఓడన్ ముర్రేను చేర్చుకోమని ఆదేశించాడు. మరుసటి ఏడాది పైకోర్టూ అదే మాటంది. 1938లో మిస్సోరీ రాష్ట్రంలోని ఇలాంటి కేసులోనే సుప్రీంకోర్టు చేతే హ్యూస్టన్ ఆ మాట అనిపించాడు.

1950 ఏప్రిల్ 22న, 54 ఏళ్లకే గుండె జబ్బుతో పోయాడు. నాలుగేళ్లకు, 1954 మే 17న, పిల్లలను రంగును బట్టి వేరు బడుల్లో పెట్టడం చెల్లదని సుప్రీంకోర్టు తీర్పిచ్చింది. వాదించి గెలిచినవారిలో ముందున్నది మార్షల్. ఆ తీర్పును పిల్లలకు పాఠంగా చెప్పే ప్రతి ఒక్కరూ మార్షల్ కన్నా ముందు హ్యూస్టన్ పేరు చెప్పాలి.