మీటింగ్ పిలిచేదెవరు? సారా ఉద్యమం నుంచి లోన్ యాప్‌ల దాకా సామాజిక పెట్టుబడి

సమాజశాస్త్రం మొదటి పాఠాల్లో విద్యార్థికి వెంటనే నచ్చే భావన సామాజిక పెట్టుబడి. మనుషుల మధ్య ఉండే నమ్మకం, రాకపోకలు, ఇచ్చిపుచ్చుకోవడాలు కూడా ఒక ఆస్తేనని, అది ఉన్న ఊళ్లో పనులు సులువుగా సాగుతాయని చెబితే కాదనేవాళ్లు ఉండరు. పోటీ పరీక్షల నోట్సుల్లోకి వచ్చేసరికి ఇది రెండు వాక్యాల నిర్వచనంగా, నాలుగు లాభాలుగా, ఒక ఉదాహరణగా మిగులుతుంది. ఆ ఉదాహరణ తరచుగా ఆడవాళ్ల డ్వాక్రా పొదుపు గ్రూపే.

ఉదాహరణ మంచిదే. దాన్ని సగంలో ఆపేయడంతోనే ఇబ్బంది. 1992లో నెల్లూరు జిల్లాలో సారా వేలంపాటలను అడ్డుకున్నది ఊరి ఆడవాళ్ల కట్టు. 2010 నాటికి కిస్తీ కట్టలేని మనిషి గడప దగ్గర కూర్చుని, డబ్బు చేతిలో పడేదాకా కదలమన్నదీ ఊరి ఆడవాళ్ల కట్టే. అవే వాడలు, వరసలు పెట్టి పిలుచుకునే అలాంటి మనుషులే. మొదటిదాన్ని సామాజిక పెట్టుబడి అనే అధ్యాయంలోనూ, రెండోదాన్ని గ్రామీణ రుణ సమస్య అనే అధ్యాయంలోనూ పెట్టేస్తే భావన శుభ్రంగానే ఉంటుంది కానీ దేన్నీ వివరించదు. ఈ వ్యాసం రెండింటినీ కలిపి చదువుతుంది. బంధం ఎంత బలమైనదని అడిగే ముందు, దాన్ని పనిలోకి దింపే అధికారం ఎవరిదని అడగాలన్నది నా వాదన. ఆ అధికారం కంటికి కనబడే చోటు మీటింగ్. దాన్ని ఎవరు పిలుస్తారు, ఏ లెక్క చూడటానికి పిలుస్తారు, మధ్యలో లేచి వెళ్లిపోగలిగేది ఎవరు?

భావన వెనక తగాదా

సామాజిక పెట్టుబడికి తండ్రులు ఎక్కువ. వాళ్లకు ఒకరితో ఒకరికి పొత్తు లేదు. ఫ్రెంచి సమాజశాస్త్రవేత్త పియెర్ బోర్డియూ వ్యాసం ఇంగ్లీషులో 1986లో వచ్చింది. ఆయనకు పెట్టుబడి అంటే అసమానంగా పంచబడినదే. డబ్బు, చదువు, పరిచయాలు ఒకదానిలోంచి ఒకదానిలోకి మారతాయి, ఆ మార్పిడిలో ఉన్నవాళ్లే ఇంకా గడిస్తారు. 1988లో అమెరికన్ జేమ్స్ కోల్‌మన్ దీన్ని మరోవైపు నుంచి చూశాడు. అందరూ అందరికీ తెలిసిన చోట మాట తప్పినవాడికి తప్పించుకునే దారి ఉండదు, అందుకే అక్కడ నమ్మకం నిలుస్తుంది అన్నాడు. 1993లో రాబర్ట్ పుట్నం ఇటలీ ప్రాంతీయ ప్రభుత్వాల పనితీరును పరిశీలించి, పౌర సంఘాలు బలంగా ఉన్నచోట పాలన కూడా బాగుందని తేల్చాడు. అభివృద్ధి సంస్థలు పుట్నాన్ని నెత్తికెత్తుకున్నాయి. పేదల దగ్గర డబ్బు లేకపోయినా ఒకరికొకరున్నారనే మాట ప్రాజెక్టు నివేదికలకు హాయిగా ఒదిగింది. 2000లో ప్రపంచ బ్యాంకు అప్పుతో ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో మొదలైన వెలుగు ప్రాజెక్టు పొదుపు గ్రూపులను గ్రామ సంఘాలుగా, మండల సమాఖ్యలుగా కట్టుకుంటూ పోయింది కూడా ఈ నమ్మకంతోనే.

బంధాల చెడ్డ ముఖం గురించి రాసినవాడు అలెహాంద్రో పోర్టెస్. 1998 నాటి వ్యాసంలో ఆయన నాలుగు కీడులు చెప్పాడు: బయటివాళ్లను రానివ్వకపోవడం, లోపలివాళ్ల మీద మోయలేని కోరికలు పెట్టడం, మనిషి స్వేచ్ఛకు కళ్లెం వేయడం, ఎవరైనా పైకెళ్లబోతే కిందికి లాగడం. మన వాడల్లో పెరిగినవాళ్లకు ఈ జాబితా చదివితే ఆశ్చర్యం కలగదు. అయితే పోర్టెస్ కూడా కీడును బంధం లోపలే వెతికాడు. బంధాన్ని బయటివాడు అరువు తెచ్చుకుని వాడుకుంటే ఏమవుతుందన్నది మనం విడిగా అడగాల్సిన ప్రశ్న.

వాళ్లు పిలుచుకున్న మీటింగ్

నెల్లూరు జిల్లాలో 1990ల మొదట్లో అక్షరాస్యత ఉద్యమం నడిచింది. పగలంతా పొలం పని చేసిన ఆడవాళ్లు రాత్రి బడికి వచ్చి దీపాల కింద కూర్చునేవారు. బడి మాటున వాళ్లకు దొరికింది రోజూ కలిసే చోటు. ఇంట్లో జరిగే తన్నులు, కూలి డబ్బు సారా కొట్టుకు పోవడం ఎవరి కొంపలో వాళ్లు దాచుకునే సంగతులు. పక్కన కూర్చున్న మనిషి ఇంట్లోనూ అదే జరుగుతోందని తెలిసేసరికి అది ఒక్కరి కర్మగా మిగల్లేదు. సి. రైట్ మిల్స్ 1959లో రాసిన మాట ఇక్కడ సరిగ్గా పనికొస్తుంది. లక్ష జనాభా ఉన్న నగరంలో ఒక్కడికి పని లేకపోతే వాడి తీరును చూడాలి, లక్షల మందికి లేకపోతే ఆర్థిక వ్యవస్థను చూడాలి అన్నాడాయన. తాగుబోతు మొగుడు సొంత కష్టం. ప్రభుత్వమే సారాను వేలం వేసి ఖజానా నింపుకోవడం ప్రజా సమస్య. మిల్స్ పేరు వినని ఆడవాళ్లు ఆ దూరాన్ని రాత్రి బడిలో దాటారు.

అదే జిల్లా దూబగుంటలో రోశమ్మ అనే మహిళతో పాటు కదిలిన ఆడవాళ్లు ఊళ్లో సారా అమ్మకాలు ఆపించారు. ఆ కథ 'ఆడవాళ్లు ఏకమైతే' అన్న పాఠంగా అక్షరాస్యత వాచకంలోకి ఎక్కి పక్క ఊళ్లకు పాకింది. 1992లో జిల్లాలో సారా వేలంపాటలు మళ్లీ మళ్లీ వాయిదా పడ్డాయి. 1993 అక్టోబరు 1 నుంచి రాష్ట్రమంతటా సారాను నిషేధించారు. 1995 జనవరిలో సంపూర్ణ మద్య నిషేధం వచ్చింది, 1997లో సడలిపోయింది. ఈ వ్యాసానికి కావలసింది నిషేధం నిలిచిందా లేదా అన్నది కాదు. ఈ మీటింగులకు అజెండా ఆడవాళ్లదే. పరువు అనే ఆయుధం ఉంది, దాన్ని సారా కాంట్రాక్టరు మీదికి, అధికారి మీదికి, అవసరమైతే తాగొచ్చిన మొగుడి మీదికి ఎక్కుపెట్టారు. సాటి ఆడమనిషి మీదికి కాదు.

ఈ ఊపులోంచే నెల్లూరులో రోజుకు ఒక్క రూపాయి దాచే పొదుపు ఉద్యమం లేచింది. 1982 నుంచి ఉన్న డ్వాక్రా పథకానికి దానితో ప్రాణం వచ్చింది. 1992లోనే నాబార్డు 500 గ్రూపులతో బ్యాంకు లింకేజీ ప్రయోగం మొదలుపెట్టింది. పది నుంచి ఇరవై మంది సభ్యులు, ముందు సొంత పొదుపు, అందులోంచే ఒకరికొకరు అప్పు, ఆ తర్వాతే బ్యాంకు లోను. వరస మారకపోవడం ఇక్కడ ముఖ్యం. ఎవరికి ఎంత ఇవ్వాలో, కాన్పు వచ్చినావిడ కిస్తీని ఎన్నాళ్లు ఆపాలో గ్రూపే తేల్చుకుంటుంది, ఎందుకంటే ఆ డబ్బులో వాళ్ల పొదుపు ఉంది.

దీన్ని స్వర్ణయుగంగా రాసే అలవాటు మన పరిశోధనల్లో ఉంది. నాకది మింగుడుపడదు. రోజుకు రూపాయి కూడా మిగలని ఇల్లు గ్రూపు బయటే ఉండిపోయేది. వాడ కులాన్ని బట్టి ఉంటుంది, గ్రూపు వాడను బట్టి ఏర్పడుతుంది, కాబట్టి చాలాచోట్ల గ్రూపు కూడా ఒకే కులానిదయింది. ఏ పార్టీ ప్రభుత్వంలో ఉన్నా బహిరంగ సభకు జనం కావాలంటే ముందు ఫోన్ వెళ్లేది గ్రూపు లీడరుకే. మీటింగ్ మీద హక్కు మెల్లగా చేతులు మారడం అప్పుడే మొదలైంది. మైక్రోఫైనాన్సు ఆ మార్పును పూర్తిచేసింది.

వాళ్లు హాజరైన మీటింగ్

బంగ్లాదేశ్‌లో మహమ్మద్ యూనస్ గ్రామీణ్ బ్యాంకు నడిపిన పద్ధతి మన దగ్గరికి లాభం కోసం పనిచేసే కంపెనీల రూపంలో వచ్చింది. దేశంలోని పెద్ద సంస్థలు కొన్ని హైదరాబాదు కేంద్రంగానే పెరిగాయి: ఎస్‌కేఎస్, స్పందన, షేర్. చాలావాటి పద్ధతి ఒకటే. ఐదుగురు కలిస్తే గ్రూపు, కొన్ని గ్రూపులు కలిస్తే సెంటరు. వారానికోసారి పొద్దున్నే సెంటర్ మీటింగ్, యాభై వారాల కిస్తీలు. తాకట్టు అక్కర్లేదు. ఒకరు కట్టకపోతే మిగతావాళ్లు కట్టాలి, లేదా వాళ్లకు వచ్చే లోను ఆగుతుంది.

బ్యాంకు గుమ్మం తొక్కనివ్వని మనిషికి ఇంటి ముందుకు వచ్చి అప్పు ఇవ్వడం చిన్న సంగతేం కాదు, ఆడవాళ్లు దాన్ని ఇష్టపడే తీసుకున్నారు. అయినా లెక్క ఒకసారి వేసి చూడాలి. పదివేలు ఇచ్చి, ఫ్లాట్ వడ్డీ 15 శాతం అని చెప్పి, 11,500ను యాభై వారాలకు పంచితే వారానికి 230 రూపాయలు. మొదటి వారం నుంచే అసలు తగ్గుతూ ఉంటుంది కానీ వడ్డీ మాత్రం మొత్తం పదివేల మీద ఏడాది పొడుగునా పడుతుంది. తగ్గుతున్న అసలు మీద లెక్కగడితే అది ఏడాదికి 29 శాతం దాటుతుంది. ఈ వడ్డీ కన్నా సమాజశాస్త్రానికి ఆసక్తి కలిగించేది మరొకటి ఉంది. తాకట్టు లేని అప్పు నూటికి తొంభై ఎనిమిది, తొంభై తొమ్మిది వంతులు తిరిగొస్తోందని సంస్థలు గర్వంగా చెప్పుకునేవి. తాకట్టు లేకుండా ఎలా వచ్చింది? తాకట్టు ఉంది, కాగితం మీద కనబడలేదంతే. పక్కింటి అక్కతో, వదినతో ఉన్న సంబంధమే తాకట్టు.

గియోర్గ్ సిమ్మెల్ 1900లో డబ్బు గురించి రాస్తూ, అది మనుషుల సంబంధాలను ముఖం లేనివిగా చేస్తుందని, ఆ దూరంలోనే ఒక స్వేచ్ఛ కూడా ఉందని వివరించాడు. బ్యాంకుకు అప్పున్న మనిషి మేనేజరు పెళ్లికి వెళ్లనవసరం లేదు. సెంటర్ మీటింగ్ ఈ సూత్రాన్ని తిరగేసింది. ముఖం లేని డబ్బు ముఖాల మధ్యలోంచి నడిచింది. బాకీ కంపెనీది, సిగ్గు మాత్రం వాడది. వసూలుకు వచ్చిన కుర్రాడు గట్టిగా మాట్లాడాల్సిన పని కూడా లేదు. మీటింగ్ ముగించకుండా కూర్చుంటే చాలు. పనికి పోవాల్సిన పద్నాలుగు మంది, రాని పదిహేనో ఆమె ఇంటికి వాళ్లే బయలుదేరతారు. బంగ్లాదేశ్‌లో ఇదే తీరును పరిశీలించిన లామియా కరీం 2011 నాటి పుస్తకంలో దీన్ని సిగ్గు మీద నడిచే ఆర్థిక వ్యవస్థగా విశ్లేషించింది.

ఈ సెంటర్లను కంపెనీలు ఖాళీ నేల మీద కట్టలేదు. కలిసి కూర్చోవడం, సంతకం పెట్టడం, పాసు పుస్తకం చూసుకోవడం, ఒకరికొకరు మాట ఇవ్వడం పొదుపు గ్రూపులు పదేళ్లుగా నేర్పిన అలవాట్లు. ప్రజాధనంతో, ఆడవాళ్ల శ్రమతో పెరిగిన ఆ అలవాట్లు ఎవరైనా వచ్చి వాడుకోగలిగేలా సిద్ధంగా ఉన్నాయి. 2010 ఆగస్టులో ఎస్‌కేఎస్ షేరు స్టాక్ మార్కెట్‌కు వచ్చింది. ఒక్కోటి 985 రూపాయలు. ఇష్యూకు గిరాకీ పలు రెట్లు వచ్చింది. తిరిగి వచ్చే కిస్తీల మీద నమ్మకానికి మార్కెట్ కట్టిన ధర అది. ఆ నమ్మకాన్ని తయారుచేసిన సెంటర్లకు ఆ ధరలో ఏ పాటి వాటా? బోర్డియూ దీన్నే మార్పిడి అన్నాడు. పుట్నం పద్ధతిలో కొలిస్తే ఇదే సెంటరు, క్రమం తప్పని హాజరుతో, అధిక సామాజిక పెట్టుబడి కింద లెక్కకు వస్తుంది. కొలబద్దలో లోపం ఎక్కడుందో చూపడానికి ఇంతకన్నా మంచి ఉదాహరణ నాకు తెలియదు.

2006లోనే కృష్ణా జిల్లాలో యంత్రాంగం కొన్ని సంస్థల శాఖలను మూయించింది. 2010లో అప్పు తీసుకున్నవాళ్ల ఆత్మహత్యల వార్తలు వరసగా వచ్చాయి. తప్పంతా మైక్రో సంస్థలదేనని తేల్చేయడం తొందరపాటు. ఆ ఏడాది సెంటర్ ఫర్ మైక్రోఫైనాన్సు వెలువరించిన సర్వే ప్రకారం రాష్ట్రంలో గ్రామీణ కుటుంబాల్లో మైక్రో సంస్థల అప్పు ఉన్నవి 11 శాతం, వడ్డీ వ్యాపారులు, బంధువుల వంటి అనధికార అప్పులు ఉన్నవి 82 శాతం. ఒక వారం కిస్తీ కోసం ఇంకో చోట వడ్డీకి తెచ్చే గొలుసు అది. కాని ఆ గొలుసులో గడువు వారంవారం తరుముకొచ్చేది, నలుగురి ముందు పేరు పిలిచేది సెంటర్ మీటింగ్ ఒక్కటే. డ్యూర్‌కైమ్ సామాజిక వాస్తవానికి చెప్పిన రెండు గుర్తులు, మనిషికి బయట ఉండటం, మనిషిని బలవంతపెట్టడం, ఇక్కడ తెల్లారి ఏడు గంటలకు చాప మీద కూర్చుని కనబడతాయి.

2010 అక్టోబరులో రాష్ట్ర ప్రభుత్వం ఆర్డినెన్సు తెచ్చింది, డిసెంబరులో అది చట్టమైంది. సంస్థ జిల్లాలో నమోదు కావాలి, వడ్డీ మొత్తం అసలును మించకూడదు, వసూళ్లు పంచాయతీ కార్యాలయం లాంటి బహిరంగ స్థలంలోనే జరగాలి, కిస్తీ వారానిది కాక నెలది కావాలి. వడ్డీ మీద జరిగినంత చర్చ చివరి రెండు నిబంధనల మీద జరగలేదు. నిజానికి చట్టం చేయి వేసింది అక్కడే, మీటింగ్ మీద. వాకిట్లోంచి మీటింగును తీసేయగానే వసూళ్లు దాదాపు కుప్పకూలాయి. రాజకీయ నాయకులు కట్టొద్దని చెప్పడం కూడా ఒక కారణమే. కానీ తాకట్టు ఎక్కడుండేదో ఆ పతనమే చూపించింది.

మీటింగ్ లేని సిగ్గు

2020 లాక్‌డౌన్ నెలల్లో ఫోన్ యాప్‌ల అప్పులు విస్తరించాయి. ఆ ఏడాది డిసెంబరులో హైదరాబాదు పోలీసులు వరసగా కేసులు పెట్టి అరెస్టులు చేశారు. ఐదారు వేలు అప్పిచ్చే ముందు యాప్ అడిగేది ఫోన్‌లోని నంబర్ల జాబితా. గడువు దాటితే మేనమామకు, ఆఫీసులో పైవాడికి, ఎప్పుడో పరిచయమైన ప్లంబరుకు కూడా సందేశాలు, మార్ఫింగ్ ఫొటోలు వెళ్లేవి.

దీన్ని మైక్రోఫైనాన్సుకు డిజిటల్ రూపం అంటే సరిపోదు. సెంటర్లో నలుగురికి కనీసం ఒకరి సంగతి ఒకరికి తెలుసు. కొట్లాడుకున్నా మర్నాడు అదే కుళాయి దగ్గర కలవాలి, కాబట్టి ఒత్తిడికి ఏదో ఒక హద్దు ఉండేది. నంబర్ల జాబితాకు అలాంటి హద్దు లేదు. అందులో ఉన్నవాళ్లు ఎవరికీ పూచీ పడలేదు, వాళ్లను ఎవరూ అడగలేదు. పరువును పట్టుకునే పద్ధతి మిగిలింది, దానికి కాస్తో కూస్తో కళ్లెం వేసే ముఖాముఖి పోయింది. రిజర్వు బ్యాంకు 2022 సెప్టెంబరు మార్గదర్శకాలు నంబర్ల జాబితా జోలికి పోవద్దని యాప్‌లను ఆదేశించాయి. 2010 చట్టం వాకిలి విషయంలో చేసిన పనే ఇది, ఫోన్ విషయంలో చేసింది.

అదే ఏడాది రిజర్వు బ్యాంకు మైక్రోఫైనాన్సు నిబంధనల్ని కూడా మార్చింది. మూడు లక్షల లోపు వార్షికాదాయం ఉన్న కుటుంబానికి నెలవారీ కిస్తీలన్నీ కలిపి ఆదాయంలో సగం దాటకూడదు. వసూలు ఇద్దరూ ఒప్పుకున్న చోటే జరగాలి, వరసగా రెండుసార్లు రాకపోతేనే ఇంటికి వెళ్లొచ్చు. 2023 ఫిబ్రవరిలో తెలంగాణ హైకోర్టు, రిజర్వు బ్యాంకు దగ్గర నమోదైన సంస్థలకు 2010 రాష్ట్ర చట్టం వర్తించదని తీర్పు ఇచ్చింది. దాంతో తెలంగాణలో ఆ సంస్థలకు తలుపు మళ్లీ తెరుచుకుంది. ఇప్పుడు క్షేత్ర పరిశోధన చేసేవాళ్లు గ్రూపుల సంఖ్యనూ హాజరు శాతాన్నీ రాసుకోవడంతో ఆగకూడదు. ఆ 'ఒప్పుకున్న చోటు'ను ఎవరు ఎంచారో, అక్కడ అప్పు తీసుకున్నావిడ పక్కన ఇంకెవరిని కూర్చోబెడుతున్నారో, ఆ మీటింగ్ నుంచి ఆమె ముందే లేచి వెళ్లిపోతే ఏం జరుగుతుందో కూడా రాసుకోవాలి.