నైతిక స్పృహ

ఒక సందర్భంలో మంచిచెడుల ప్రశ్న దాగి ఉందని పసిగట్టగల శక్తిని నైతిక స్పృహ అంటారు. మనోవిజ్ఞాన గ్రంథాల్లో దీన్నే నైతిక సున్నితత్వం అని కూడా రాస్తారు. మన పని వల్ల ఎవరికి ఏం జరుగుతుంది, ఎవరి హక్కుకు, ఎవరి మర్యాదకు దెబ్బ తగులుతుంది అని ఊహించగలగడం ఇందులో భాగం. ఏది న్యాయమో తేల్చుకోవడం ఆ తర్వాతి మెట్టు. ప్రశ్నే కంటపడనివారు జవాబు కోసం వెతకరు గనుక, నైతిక నిర్ణయానికి ఇదే తొలి అడుగని పరిశోధకుల్లో చాలామంది భావిస్తారు. తత్వశాస్త్రంలో ఈ భావనకు రెండు వేల ఏళ్లకు పైబడిన చరిత్ర ఉన్నా, దాన్ని విడదీసి కొలిచే ప్రయత్నాలు 1980లలోనే ఊపందుకున్నాయి.

ప్రాచీన భావనలు

క్రీ.పూ. 4వ శతాబ్దంలో అరిస్టాటిల్ తన నీతిశాస్త్ర గ్రంథంలో ఈ సంగతిని సూటిగా తాకాడు. ఎవరిమీద, ఎంత, ఎంతసేపు కోపగించుకోవడం తగునో సూత్రం కట్టి చెప్పలేమనీ, సందర్భాన్ని చూసి గ్రహించే చూపు మీదే తీర్పు ఆధారపడుతుందనీ ఆయన వాదించాడు. అదే శతాబ్దంలో చైనా తత్వవేత్త మెన్షియస్, చీ రాజ్యాధిపతి షువాన్‌తో జరిపిన సంభాషణ ఇంకా ఆసక్తికరమైనది. కొత్త గంటకు రక్తం పూయడానికి బలికి తోలుకుపోతున్న ఎద్దు బెదురు చూడలేక, దాన్ని వదిలి గొర్రెను బలివ్వమని రాజు ఆజ్ఞాపించాడు. రాజుకు పిసినారితనమని జనం గుసగుసలాడారు. మెన్షియస్ అలా అనలేదు. తమరు ఎద్దును చూశారు, గొర్రెను చూడలేదు, అంతే తేడా అని విప్పి చెప్పి, ఆ జాలినే ప్రజల దాకా చాచమని హితవు పలికాడు. కంటికి ఆనినదే మనసుకు ఆనుతుందన్న ఈ పరిశీలనను ఆధునిక మనోవిజ్ఞానం 20వ శతాబ్దం చివర్లో మళ్లీ కనుక్కొంది.

పాళీ బౌద్ధ గ్రంథాలు హిరి, ఒత్తప్ప అనే రెండు గుణాలను లోకపాలకులుగా పేర్కొన్నాయి. తప్పు చేయడానికి లోలోపల సిగ్గుపడటం మొదటిది, దాని పర్యవసానానికి జంకడం రెండోది. మహాభారతంలో ఆనృశంస్యం, అంటే ఇతరుల పట్ల క్రూరత్వం లేకపోవడం, పరమధర్మంగా కనిపిస్తుంది. యక్షప్రశ్నల ఘట్టంలో తమ్ముల్లో ఒకరినే బతికిస్తానని యక్షుడు అన్నప్పుడు, భీమార్జునులను కాదని ధర్మరాజు నకులుణ్ణి కోరుకున్నాడు. కుంతికి తానున్నాడు, మాద్రికీ ఒక కొడుకు మిగలాలి. ఆ చోట లేని, ఎప్పుడో కాలం చేసిన సవతి తల్లిని కూడా లెక్కలోకి తీసుకున్న నిర్ణయమిది. తెలుగు భారతంలో ఈ ఘట్టం ఎఱ్ఱన పూరించిన అరణ్యపర్వ శేషంలో ఉంది.

మధ్యయుగ ఐరోపాలో అంతరాత్మ స్వభావంపై క్రైస్తవ పండితులు, ముఖ్యంగా 13వ శతాబ్దంలో థామస్ అక్వినాస్, విస్తారంగా రాశారు.

పద్దెనిమిదో శతాబ్దపు బ్రిటన్

ఈ భావనకు స్వర్ణయుగం అనదగిన కాలం ఇదే. షాఫ్ట్స్‌బరీ ప్రభువు 1711లో వెలువరించిన వ్యాస సంపుటిలో, అందాన్ని గుర్తించినట్టే మంచిని గుర్తించే ఇంద్రియం మనిషికి సహజంగా ఉందన్న ఆలోచనను ముందుకు తెచ్చాడు. ఐర్లండులో పుట్టి గ్లాస్గో విశ్వవిద్యాలయంలో నీతిశాస్త్ర ఆచార్యుడైన ఫ్రాన్సిస్ హచిసన్ 1725 నాటి గ్రంథంలో దాన్ని సిద్ధాంతంగా నిలబెట్టాడు. లాభనష్టాల లెక్కతో పనిలేకుండానే ఒక దయగల పని మనకు నచ్చుతుందనీ, అది బుద్ధి కట్టిన లెక్క కాదు, చూడగానే కలిగే అనుభూతి అనీ ఆయన వాదన. డేవిడ్ హ్యూమ్ 1739–40లో వెలువరించిన గ్రంథంలో నీతికి మూలం హేతువులో కంటే అనుభూతిలోనే ఉందని మరింత పదునుగా నిరూపించబోయాడు.

హచిసన్ శిష్యుడు ఆడం స్మిత్ గురువుతో పూర్తిగా ఏకీభవించలేదు. ప్రత్యేకమైన నైతిక ఇంద్రియం ఏదీ లేదనీ, ఎదుటివాడి స్థానంలో మనల్ని మనం ఊహించుకోవడమే అన్నిటికీ మూలమనీ 1759లో నైతిక భావాల మీద రాసిన పుస్తకంలో చెప్పాడు. ఇందులో ఆయన ఇచ్చిన ఉదాహరణ నేటికీ తరగతి గదుల్లో వినిపిస్తుంది. చైనా దేశం మొత్తం భూకంపంలో మునిగిపోయిందని విన్న ఐరోపావాసి కాసేపు విచారించి, ఆ రాత్రి గుర్రుపెట్టి నిద్రపోతాడు. రేపు తన చిటికెన వేలు తీసేస్తారని తెలిస్తే మాత్రం కన్ను మూతపడదు. ఈ వంకరను సరిచేయడానికే ప్రతి మనిషీ తనలో ఒక నిష్పాక్షిక సాక్షిని పెంచుకుంటాడని స్మిత్ అభిప్రాయం. ‘వెల్త్ ఆఫ్ నేషన్స్’ రచయితగా మాత్రమే ఆయనను ఎరిగినవారికి ఈ స్మిత్ కొత్తగా కనిపిస్తాడు.

ఈ చర్చలకు అసలు పరీక్ష కోర్టులో ఎదురైంది. 1781లో లివర్‌పూల్ వ్యాపారుల ఓడ జాంగ్ నుంచి సుమారు 130 మంది ఆఫ్రికన్ బానిసలను సిబ్బంది సముద్రంలోకి తోసేశారు. మంచినీళ్లు అయిపోవచ్చాయని సాకు చెప్పారు. తలకు 30 పౌండ్ల చొప్పున బీమా సొమ్ము కోసం యజమానులు దావా వేశారు, మొదటి విచారణలో గెలిచారు కూడా. 1783లో ప్రధాన న్యాయమూర్తి మ్యాన్స్‌ఫీల్డ్ ముందుకు వచ్చింది హత్యకేసు కాదు. నష్టం ఎవరు భరించాలన్న బీమా తగాదా. గుర్రాలను పారేసినా కేసు ఇదే విధంగా నడిచేదని ఆయనే వ్యాఖ్యానించినట్టు నమోదైంది. ఇది హత్య అని పేరుపెట్టి, హంతకులపై విచారణ జరగాలని పట్టుబట్టినవాడు గ్రాన్‌విల్ షార్ప్. ఆయనకు కబురు తెచ్చినవాడు ఒకప్పుడు బానిసగా బతికిన ఒలౌడా ఇక్వియానో. ఎవరినీ శిక్షించలేదు. అయితే 1787 మే 22న లండన్‌లో బానిస వ్యాపార నిర్మూలన సంఘం ఏర్పడింది. మరుసటి ఏడాది బయటికి వచ్చిన బ్రూక్స్ ఓడ పటం, నాలుగు వందల పైచిలుకు మనుషులను అడుగున పక్కపక్కనే పేర్చిన తీరును గీసి చూపి, వాదోపవాదాలు చేయలేని పని చేసింది. 1807లో పార్లమెంటు ఆ వ్యాపారాన్ని నిషేధించింది.

తెలుగునాట ఒక జాబితా

కాంట్ తర్వాతి ఐరోపా తత్వశాస్త్రంలో కర్తవ్యం, ప్రయోజనం అనే చర్చలు ముందుకు వచ్చి, గ్రహింపు సంగతి వెనకబడింది. ఇదే కాలంలో తెలుగు సంస్కరణోద్యమం అలవాటైన ఆచారాన్ని సమస్యగా చూపించే పనిలో పడింది. కందుకూరి వీరేశలింగం 1881 డిసెంబరు 11న రాజమండ్రిలో తొలి వితంతు వివాహం జరిపించారు. విజయనగరం మహారాజా ఆనంద గజపతి మూడేళ్లలో విశాఖపట్నం తీరాన సాధారణ బ్రాహ్మణ కుటుంబాల్లో వధువు తరఫువారు డబ్బు పుచ్చుకుని జరిపిన శుల్క వివాహాలకు జాబితా తయారు చేయించారు. లెక్క 1,034కు చేరింది. పెళ్లి నాటికి 99 మంది పిల్లలకు ఐదేళ్లు, 44 మందికి నాలుగు, 36 మందికి మూడు, ఆరుగురికి రెండు, ముగ్గురికి ఏడాది. 1892లో రంగస్థలమెక్కిన ‘కన్యాశుల్కం’ అచ్చైనప్పుడు గురజాడ అప్పారావు ఈ అంకెలను ముందుమాటలో పొందుపరిచారు. విడివిడిగా ప్రతి పెళ్లీ శుభకార్యమే, పందిరి, మేళం, భోజనాలతో ఊరంతా కలిసి చేసుకున్నదే. ఒక కాగితం మీద వరుసగా పేర్చేసరికి అది మరోలా కనిపించింది. నాటకం సాధించిన ఘనతలో ఈ జాబితాకు రావలసిన వాటా తక్కువేమీ కాదు.

మనోవిజ్ఞానంలో ప్రవేశం

1932లో జీన్ పియాజే పిల్లల నైతిక తీర్పుపై, 1958 నుంచి లారెన్స్ కోల్‌బర్గ్ నైతిక వికాస దశలపై చేసిన పరిశోధనలు ఈ రంగాన్ని శాసించాయి. కోల్‌బర్గ్ పద్ధతిలో కథ ముందే సిద్ధంగా ఉంటుంది: భార్య ప్రాణాపాయంలో ఉంది, మందు కొనే స్తోమత లేదు, హైంజ్ దొంగతనం చేయవచ్చా? చిక్కు ఎక్కడుందో ప్రశ్న వేసినవారే చెప్పేస్తారు. జీవితం ఆ సౌకర్యం ఇవ్వదు. ప్రిన్స్‌టన్‌లో జాన్ డార్లీ, డేనియల్ బాట్సన్ 1973లో ప్రకటించిన ప్రయోగంలో ఇది తేటపడింది. మతబోధకులు కాబోయే 40 మంది విద్యార్థులను ప్రసంగం చేయడానికి పక్క భవనానికి పంపారు. వారిలో కొందరి ప్రసంగాంశం, దారిలో గాయపడి పడి ఉన్న అపరిచితుడికి సాయం చేసినవాడి గురించిన బైబిల్ కథే, అంటే మంచి సమరయుడి కథే. దారిలో ఒక మనిషి మూలుగుతూ కూలబడి ఉన్నాడు. తొందర లేనివారిలో 63 శాతం, కొంత తొందరలో ఉన్నవారిలో 45 శాతం, ఆలస్యమైపోయిందని చెప్పి పంపినవారిలో 10 శాతం మాత్రమే ఆగి సాయపడ్డారు.

మినెసోటా విశ్వవిద్యాలయానికి చెందిన జేమ్స్ రెస్ట్ 1983లో ప్రతిపాదించిన చతురంగ నమూనాతో చిత్రం స్పష్టమైంది. నైతిక ప్రవర్తనకు నాలుగు అంగాలు కావాలని ఆయన అన్నాడు: సమస్యను గుర్తించే స్పృహ, ఏది సరైనదో తేల్చే తీర్పు, దానికి మిగతావాటికన్నా పెద్దపీట వేసే సంకల్పం, చివరిదాకా నిలిచే స్థైర్యం. ఒకదానిలో గట్టివాడు మరోదానిలో బలహీనుడు కావచ్చు. అదే విశ్వవిద్యాలయపు దంతవైద్య కళాశాలలో మ్యూరియల్ బెబో దీన్ని పరీక్షకు పెట్టారు. 1985లో ప్రచురితమైన ఆ పరీక్ష అమరిక ప్రశంసనీయం. విద్యార్థికి దంతవైద్యుడు, రోగి మధ్య సంభాషణ టేపు వినిపిస్తారు. ఇక్కడ నైతిక సమస్య ఉందని ఎవరూ చెప్పరు. సంభాషణ ఒకచోట ఆగిపోతుంది. అక్కడినుంచి విద్యార్థే వైద్యుడై రోగితో మాట్లాడాలి. ఆ మాటలు రికార్డు చేసి, అతను దేన్ని గమనించాడు, దేన్ని దాటేశాడు అని మార్కులు వేస్తారు. కోల్‌బర్గ్ తరహా తీర్పులో రాణించినవారంతా ఇందులో రాణించలేదు.

తత్వశాస్త్రంలోనూ ఈ చూపు తిరిగి వచ్చింది. ఐరిస్ మర్డాక్ 1970 నాటి పుస్తకంలో ఇచ్చిన ఉదాహరణ తెలుగు పాఠకుడికి పరాయిది కాదు. కోడలు మోటు మనిషని అనుకునే అత్త, పైకి ఎప్పుడూ మర్యాదగానే ఉంటూ, తనలో అసూయ ఉందేమోనని ఆలోచించి ఆ అమ్మాయిని మళ్లీ పరిశీలనగా చూస్తుంది. మోటుతనం కలుపుగోలుతనంగా కనిపిస్తుంది. బయట ఏమీ మారలేదు. అయినా నైతికమైన పని ఒకటి జరిగిందని మర్డాక్ వాదన.

వృత్తుల్లో

నర్సుల కోసం స్వీడన్‌లో కిమ్ లూట్‌జెన్ 1990లలో ఒక ప్రశ్నావళి తయారు చేశారు, 2006లో దాన్ని తొమ్మిది ప్రశ్నలకు కుదించారు. అనేక దేశాల్లో వాడుతున్నా, ఎవరి స్పృహ ఎంతో వారినే చెప్పమనడం దీని లోపం. వ్యాపార రంగంలో థామస్ జోన్స్ 1991లో నైతిక తీవ్రత అన్న భావనను తెచ్చారు. హాని పెద్దదై, దగ్గరివారికి, త్వరలో జరిగేదైతే మనిషి దాన్ని సమస్యగా గుర్తించే అవకాశం ఎక్కువన్నది దాని సారం.

మరుసటి ఏడాది డెనిస్ జియోయా రాసిన వ్యాసం ఈ సాహిత్యంలో అరుదైనది. ఆయన 1970ల తొలినాళ్లలో ఫోర్డ్ కంపెనీలో లోపమున్న కార్లను వెనక్కి రప్పించే విభాగంలో పనిచేశాడు. వెనక నుంచి గుద్దితే పింటో కారు ఇంధన ట్యాంకు అంటుకుంటున్న ఫిర్యాదులు ఆయన బల్ల మీదికే వచ్చాయి. కాలిపోయిన కారునూ చూశాడు. రప్పించనక్కర్లేదనే ఓటు వేశాడు. తానూ పింటోనే నడిపాడు, తర్వాత దాన్ని సోదరికి అమ్మాడు. ఎన్నో ఫైళ్లలో ఇదొకటిగానే కనిపించిందనీ, నైతిక ప్రశ్నగా తట్టనే లేదనీ ఆయన రాసుకున్నాడు. యాన్ టెన్‌బ్రన్సెల్, డేవిడ్ మెసిక్ 2004లో ఇలా నీతి మసకబారడాన్ని సిద్ధాంతీకరించారు.

వైద్యంలో అతిపెద్ద ఉదాహరణ అలబామా రాష్ట్రంలోని టస్కీగీ. 1932 నుంచి సుమారు 400 మంది నల్లజాతి సిఫిలిస్ రోగులను చికిత్స ఇవ్వకుండా గమనిస్తూ పోయారు. పెన్సిలిన్ అందుబాటులోకి వచ్చాక కూడా ఇవ్వలేదు. ఇది రహస్యమేమీ కాదు, ఫలితాలు వైద్య పత్రికల్లో అచ్చవుతూనే ఉన్నాయి. 1965లో డెట్రాయిట్ వైద్యుడు ఇర్విన్ షాట్జ్ నిరసిస్తూ ఉత్తరం రాశాడు, జవాబు రాలేదు. శాన్‌ఫ్రాన్సిస్కోలో, ఆ అధ్యయనాన్ని నడిపిన ప్రభుత్వ విభాగంలోనే రోగులను ఇంటర్వ్యూ చేసే చిరుద్యోగి పీటర్ బక్స్‌టన్ సహోద్యోగుల మాటల్లో సంగతి విని, 1966 నుంచి పట్టు వదలలేదు. 1972 జూలైలో పత్రికలకెక్కాకే అధ్యయనం ఆగింది.

భారతదేశంలో

2009లో అప్పటి ఆంధ్రప్రదేశ్‌లోని ఖమ్మం జిల్లాలో 10–14 ఏళ్ల బాలికలకు గర్భాశయ ముఖద్వార క్యాన్సర్‌ను నివారించే హెచ్‌పీవీ టీకా వేసే ప్రదర్శన ప్రాజెక్టు మొదలైంది. వారిలో చాలామంది గిరిజన హాస్టళ్ల పిల్లలు. టీకా వేయించుకున్న కొందరు బాలికలు చనిపోయాక, 2010 ఏప్రిల్‌లో ప్రాజెక్టును నిలిపివేశారు. ఆ మరణాలకు టీకా కారణం కాదని విచారణ సంఘం తేల్చింది. కానీ సమ్మతి పత్రాలు తిరగేసినప్పుడు, పరిశీలించిన 9,500కు పైగా పత్రాల్లో 2,700కు పైగా వార్డెన్లు, ప్రధానోపాధ్యాయులే సంతకాలు చేసినట్టు బయటపడింది. అడగవలసిన తల్లిదండ్రులు ఊళ్లలోనే ఉన్నారు. రోజువారీ రిజిస్టర్లలో సంతకం పెట్టే చేతితోనే ఇవీ పూర్తయ్యాయి. పార్లమెంటు స్థాయీ సంఘం 2013 నివేదికలో దీన్ని తీవ్రంగా తప్పుపట్టింది.

అదే 2013లో సివిల్స్ మెయిన్స్‌లో 250 మార్కుల నీతిశాస్త్ర పత్రం చేరింది. దాదాపు సగం మార్కులు కేస్ స్టడీలవే. హైదరాబాద్ అశోక్‌నగర్ కోచింగ్ సెంటర్లలో వీటికి ప్రత్యేక తరగతులు నడుస్తాయి. రెస్ట్ నమూనాలోని రెండో అంగానికి ఇది మంచి పరీక్షే. మొదటి అంగాన్ని మాత్రం తాకదు, ఎందుకంటే నైతిక సమస్య ఉందన్న సంగతి ప్రశ్నపత్రం శీర్షికలోనే ఉంటుంది. ఎంబీబీఎస్‌లో 2019 బ్యాచ్ నుంచి వైఖరి, నీతి, సంభాషణ నైపుణ్యాలపై ఆయెట్‌కామ్ అనే పాఠ్యభాగం ప్రవేశపెట్టారు. డిసెక్షన్ బల్ల మీది దేహాన్ని తొలి గురువుగా పరిచయం చేయడం నుంచి రోగి సమ్మతి అడిగే తీరు వరకు ఇందులో అభ్యాసాలున్నాయి. రాత పత్రాల్లోనూ దీనికి చోటిచ్చారు గనుక, గైడు పుస్తకాల్లో ఆయెట్‌కామ్ ప్రశ్నలకు నమూనా జవాబులు కూడా వచ్చేశాయి.